అన్నయ్య చెప్పిన జాలరుల కథ

మొన్న సుంగై పెటానిలో మా మునిమనవరాలు ఫోనులో పాత రష్యా మూకీ చిత్రం ఒకటి పెట్టుకుని, "ఏటి తాతమ్మా ఇది, ఒక్క మాటా వినపడదు లా" అని ఇక్కడి మలాయి వాళ్ళ యాసలో విసుక్కుంది. చూద్దును కదా, ఆ పడవలు, ఆ వలలు, మెడలకు రుమాళ్ళు కట్టుకున్న ఆ కుర్రకారు! చిన్నప్పుడు చూసిన బొమ్మే.

మీలో సుంగై సుమున్ రబ్బరు ఎస్టేటులో నాతో పెరిగిన వాళ్ళకు గుర్తుండే ఉంటుంది, యుద్ధం అయిపోయాక ఒక చీనా ఆయన చేత్తో తిప్పే మిషనూ రీళ్ళ డబ్బాలూ సైకిలు మీద తెచ్చి, ఆదివారం మధ్యాహ్నాలు రబ్బరు షీట్లకు పొగబెట్టే కిటికీల్లేని కొట్టంలో దుప్పటి కట్టి ఇదే బొమ్మ ఆడించేవాడు. తెరమీది రష్యా అక్షరాలు ఎవరికీ రావు గనుక మా అన్నయ్య పక్కన నిలబడి, వాళ్ళు మన భీమిలి జాలరులేననీ, పడవల షావుకారు పెట్టే బాధలు పడలేక కుర్రాళ్ళంతా ఒక్కటయ్యారనీ తోచిన కథ అల్లి, చివరికి ఒక పెళ్ళి కూడా చేసేసేవాడు. అమ్మ కళ్ళొత్తుకునేది. ఇంగ్లీషు బడికి వెళుతున్న పొగరుతో నేను మాత్రం డబ్బాలోని ఇంగ్లీషు కాగితం చదివేసి, వీడికి అసలు కథే తెలియదని నవ్వుకునేదాన్ని.

కమ్యూనిస్టుల వేటకని తెల్లవాళ్ళు పెట్టిన ఎమర్జెన్సీ వచ్చింది. చీనా ఆయన పత్తా లేకుండా పోయాడు. తెల్లదొర ఒకడు అరవ దుబాసీని వెంటబెట్టుకుని వచ్చి ఆ బొమ్మ సంగతేమిటని అడిగితే, పెద్దవాళ్ళంతా భీమిలి పెళ్ళి కథే చెప్పారు. దొర నవ్వి లేవబోయాడు. ఎవరూ అడక్కుండానే నేను ముందుకు వెళ్ళి, అది పెళ్ళి కథ కాదు, కమ్యూనిస్టు కుర్రాళ్ళు జాలరులను కూడగట్టిన కథ అని చక్కని ఇంగ్లీషులో దిద్దాను. ఆయన నన్ను మెచ్చుకున్నాడు కూడా. ఆ తరవాత, ఆ కథ జనానికి చెప్పిందెవరని అడిగాడు.

పోలీసుల లారీ ఎక్కుతూ అన్నయ్య, "నువ్వు తప్పేటీ సెప్పలేదు సెల్లీ, సదివిందే సెప్పినావు" అన్నాడు. తిట్టినా బాగుండేది. వాణ్ణి కొన్నాళ్ళు ఖైదీల క్యాంపులో ఉంచి విశాఖ ఓడ ఎక్కించేశారు. మెర్దెకా నాడు, అంటే ఈ దేశానికి స్వాతంత్ర్యం వచ్చిన నాడు, ఊరంతా జెండాలు పట్టుకు తిరుగుతుంటే, ఇక వచ్చేది మనవాళ్ళ ప్రభుత్వం, నా కొడుకును రానిస్తారని అమ్మ వాడి తెల్లచొక్కా ఉతికి ఆరేసింది. వాడు రాలేదు. ఆ చొక్కా ఇప్పటికీ నా పెట్టెలోనే ఉంది.

ఇప్పుడు ఏ బొమ్మకైనా కోరిన భాషలో మాటలు కింద వస్తాయట, పక్కన నిలబడి చెప్పేవాడి అవసరమే లేదు. అయినా పిల్ల నా ఒళ్ళో ఫోను పెట్టి అడిగితే, భీమిలి జాలరులతో మొదలుపెట్టి పెళ్ళి దాకా అన్నయ్య కథే చెప్పాను. దానికి నా తెలుగు సగమే అర్థమైంది. కింద ఇంగ్లీషులో వేరేగా రాసి ఉందే అంది. వాళ్ళకేం తెలుసు, మా అన్న సెప్పిందే నిజం అన్నాను. ఆ ఒక్క మాట ఆ రోజు దొర ముందు నా నోట రాలేదు.