బాదం తోటలో మూడో పిలుపు

ఈ ప్రయాణానికి కారణం ఒక టిఫిన్ డబ్బా. శాన్ రామన్‌లో మా తెలుగు చర్చికి వచ్చే ఎమ్మెస్ అమ్మాయి ఒకతి మొన్న శీతాకాలం మొదట్లో మూడు వారాలు గదిలోంచి బయటికి రాలేదు. మేం ఆంటీలం వంతులు వేసుకుని పప్పూ అన్నం తీసుకెళ్ళి తలుపు గొళ్ళేనికి తగిలించి వచ్చాం. "పరీక్షలేమో" అని ఒకరు, "ప్రేయర్‌లో పెడదాం" అని ఒకరు. ఏమైందని ఆ పిల్లని ఒక్కరమూ అడగలేదు. చివరికి రూమ్మేటే ఆస్పత్రికి తీసుకెళ్ళింది. ఇప్పుడు బాగుంది, క్లాసులకు వెళ్తోంది. కానీ నాకు మాత్రం సిగ్గు పోలేదు. పది రకాల పచ్చళ్ళు పంచగలం గానీ ఒక్క ప్రశ్న అడగలేకపోయాం. అలాంటి రోజుల్లో లైబ్రరీలో జరిగిన ఒక సమావేశంలో గ్రేసియేలా పరిచయమైంది. ఆవిడ ఇక్కడికి వందమైళ్ళ పైన, సెంట్రల్ వ్యాలీలో, స్పానిష్ మాట్లాడే తోట కూలీల ఇళ్ళకు తిరుగుతూ వాళ్ళ మనసు బాగోగులు కనుక్కుంటుంది. ఆ పని చేసే మనిషిని వాళ్ళు ప్రొమొతోరా అంటారు. డాక్టరు కాదు, వాళ్ళలోంచే వచ్చిన మనిషి. "ఇది మీటింగుల్లో వచ్చే విద్య కాదు. ఒకరోజు నాతో రండి" అంది.

జనవరిలో ఒక గురువారం లీవ్ పెట్టాను. మా ఆయన ముందురోజే వాతావరణం చూసి, "ఫాగ్ అడ్వైజరీ ఉంది. లీవ్ పెట్టి మరీ పొగమంచులోకి డ్రైవ్ చేస్తావా? వాళ్ళని జూమ్‌లో కలవకూడదూ?" అన్నాడు. ఆయనకు జూమ్‌లో కానిది ఏదీ లేదు. తెల్లవారుజామున ఐదుంబావుకు బయల్దేరి, లివర్‌మోర్‌లో ట్యాంకు నింపుకున్నాను, యాభై డాలర్ల పైచిల్లర అయింది. 580 హైవే మీద ఆల్టమాంట్ కొండ ఎక్కేదాకా నింగిలో చుక్కలున్నాయి. కొండ దిగి ఐ-ఫైవ్ ఎక్కాక చుక్కలూ లేవు, రోడ్డూ లేదు. ఆ మంచు పైనుంచి దిగదు, నేలలోంచి లేస్తుంది. మ్యాప్‌లో నా చుక్క కదులుతోంది, అద్దంలోంచి చూస్తే కారు నిలబడే ఉన్నట్టుంది. ముందున్న లారీ ఎర్ర దీపాలను నమ్ముకుని వెళ్ళి, దానితోపాటే ఎగ్జిట్ దిగి, ఎవరిదో టమాటా గోడౌన్ గేటు ముందు తేలాను. అక్కడి కాపలా ఆయన కిటికీ దాకా వచ్చి నవ్వి, "ఇవాళ మీరు నాలుగోవారు" అన్నాడు. ఈ దారిన వచ్చేవాళ్ళు లోబీమ్ లైట్లే వేయండి, హైబీమ్ వేస్తే కళ్ళముందు తెల్ల గోడ లేస్తుంది. లారీలను మాత్రం నమ్మకండి. సాంటా నెల్లాలో కాఫీ తాగేసరికి ఏడున్నర అయింది, అక్కడినుంచి దక్షిణంగా ఇంకో గంట పట్టింది. ఆ ఊరి పేరు రాయను, పేర్లూ మార్చాను. మిగతాదంతా ఆ ఇంటివాళ్ళు రాయమంటేనే రాస్తున్నాను.

గ్రేసియేలా బేకరీలో కలిసింది. యాభై ఏళ్ళుంటాయి, పొట్టి మనిషి, పెద్ద గొంతు. తొమ్మిదేళ్ళు బాదం తోటల్లో పనిచేసి ఈ పనిలోకి వచ్చింది. తను మాట్లాడేది ఇంగ్లీషూ స్పానిషూ కలగలిపి, నేను తెలుగులో రాస్తున్నాను. డజను తీపి రొట్టెలు పద్దెనిమిది డాలర్లు, నన్ను ఇవ్వనివ్వలేదు. నా చేతిలో ఫైలు చూసింది.

"అదేంటి?"

"ప్రశ్నల ఫారం. దిగులు ఎంతుందో లెక్క తేలుతుందట. స్పానిష్‌లోనే ప్రింట్ చేసి తెచ్చాను."

"కార్లో వదిలేయండి. ఫారం క్లినిక్‌లో ఇస్తారు. మనం వెళ్ళేది తలుపు తీయించడానికి. మెంటల్ అన్న మాట గడప దాటితే మనం బయటికి నడవాలి. నిద్ర పడుతోందా అని అడగండి. తిండి సయిస్తోందా అని అడగండి. నెర్వియోస్ అనండి, నరాలు అలిసిపోయాయని. ముందు రొట్టె పెట్టండి."

నాకు నవ్వొచ్చింది, బాధా కలిగింది. మా ఇళ్ళలోనూ అంతే. "కాస్త టెన్షన్ అండీ" అంటాం, ఆ పైమాట ఎవరం అనం.

దారిలో సంగతి చెప్పింది. రెఫుహియో అనే ఆయన, ఆయన తమ్ముడు తొమాస్ ఒకే తోటలో పనిచేసేవారు. ఆగస్టులో కోతలప్పుడు ఎండకు తొమాస్ తోటలోనే పడిపోయి చనిపోయాడు. అప్పటినుంచి రెఫుహియో మాట్లాడటం తగ్గిస్తూ తగ్గిస్తూ వచ్చి, నెల రోజులుగా పూర్తిగా మానేశాడు. పని లేని రోజు కూడా తెల్లారేసరికి తోటకు పోతాడు. క్లినిక్‌లో స్పానిష్ తెలిసిన కౌన్సెలర్ ఒక్కరే ఉన్నారు. రెండు అపాయింట్‌మెంట్లు ఇస్తే రెండింటికీ వెళ్ళలేదు. ఇవాళ ఒంటిగంటన్నరకు మూడోది. ఇదీ పోతే మళ్ళీ రెండు నెలల తర్వాతే. "రెండు నెలలు ఆగే మనిషిలా లేడు" అంది గ్రేసియేలా, మామూలు గొంతుతో.

తొమ్మిదుంబావుకు ఆ ఇంటికి చేరాం. ఆయన భార్య అంపారో తలుపు తీసింది. ఆయన ఆరింటికే వెళ్ళిపోయాడట. ఇంట్లో నాలుగు కుర్చీలూ తోట వైపు కిటికీకే తిప్పి ఉన్నాయి, ఆ కిటికీలో మంచు తప్ప ఏమీ లేదు. బల్లమీద గ్లాసులో కోడిగుడ్డు పగలగొట్టి ఉంది. రాత్రి ఆ గుడ్డును ఆయన ఒంటిమీదుగా తిప్పి నీళ్ళలో కొట్టిందట. రోజ్‌మేరీ కొమ్మలతో తల నుంచి కాళ్ళదాకా మూడుసార్లు తుడిచిందట. జడుసుకున్న మనిషి ప్రాణం జడుసుకున్న చోటే ఉండిపోతుందని వాళ్ళ నమ్మకం, దాన్ని సుస్తో అంటారు. ఆ చోటుకు పోయి పేరుపెట్టి పిలవాలి: రా, అక్కడ ఉండిపోకు, అని. పిలిపించుకున్న మనిషి "వస్తున్నా" అనాలి. అప్పుడే తిరిగొస్తుంది.

"రోజూ పిలుస్తున్నాను" అంది అంపారో. "ఆయన పలకడం లేదు. ఆ ఒక్క మాట అనడు."

నాకిది కొత్తేమీ కాదు. ఒంగోలులో మా నానమ్మ ఆదివారం చర్చిలో ముందు వరుసలో కూర్చునేది, సోమవారం నాకు ఉప్పూ మిరపకాయలతో దిష్టి తీసేది. పాస్టరుగారికి తెలిసినా ఊరుకునేవారు. కానీ దిష్టి తీశాక మా ఇంట్లో అన్నం పెట్టేవాళ్ళు. ఆ బల్లమీద గుడ్డు మాత్రం రాత్రంతా అలాగే కూర్చుని ఉంది, నేను దానివైపు చూడలేకపోయాను.

అంపారోనూ ఎక్కించుకుని వెళ్ళి, పది గంటలకు తోట దగ్గర కారాపాను. ఆకు రాలిన చెట్లు, నాలుగో చెట్టు తర్వాత ఏమీ కనబడదు. గ్రేసియేలా నాకు చిన్న పనే అప్పగించింది. "మీరు కారు దగ్గరే ఉండండి. మేం లోపలికి వెళ్ళి వెతుకుతాం. దారి తెలియకపోతే మీ పేరు పిలుస్తాను, పలకండి. మీ గొంతు పట్టుకుని బయటికొస్తాం." ఇద్దరూ పది అడుగులు వేశారో లేదో మాయమయ్యారు. కొంతసేపు అంపారో పిలుపు వినబడింది, "రెఫుహియో, రా, అక్కడ ఉండిపోకు" అని. అది ఒకసారి ఎడమనుంచి, ఒకసారి వెనకనుంచి వచ్చినట్టుంది. తర్వాత అదీ ఆగింది. కొమ్మలనుంచి నీటిచుక్కలు రాలే చప్పుడు మిగిలింది. చేతిలో రొట్టెల పెట్టె పట్టుకుని నిలబడ్డాను.

అప్పుడు, "ప్రమీలా" అని వినిపించింది.

ఆ గొంతు గ్రేసియేలాదిలా లేదు. సన్నగా, దగ్గరగా ఉంది. నేను పలకలేదు. రెండోసారి పిలిచింది. అప్పుడూ పలకలేదు. కనపడని గొంతు పిలిస్తే మూడోసారి దాకా నోరు విప్పకూడదని చిన్నప్పుడు నానమ్మ నేర్పింది. క్లౌడ్ సర్వర్లతో ఉద్యోగం చేసే నలభై ఆరేళ్ళ మనిషిని, పలకడం ఒక్కటే నాకప్పగించిన పని, అయినా నోరు తెరవలేకపోయాను.

"మీరూ పలకరా?"

ఇది మగ గొంతు. నా కుడిపక్కన, రెండు బారల దూరంలో. బోరు పైపు మీద ఒక మనిషి కూర్చుని ఉన్నాడు. నేను వచ్చినప్పటినుంచీ అక్కడే ఉన్నాడు. టోపీ అంచు నుంచి నీళ్ళు కారుతున్నాయి.

"కనపడని వాళ్ళు పిలిస్తే మూడోసారికి గానీ పలకొద్దని మా నానమ్మ చెప్పింది" అన్నాను. ఆ క్షణాన ఇంకేం తోచలేదు.

ఇరవై ఏళ్ళు తోటల్లో నేర్చుకున్న ఇంగ్లీషు ఆయనది, ఒక్కో మాటా విడిగా వచ్చింది. "మంచి పద్ధతి. నన్ను ఇద్దరు పిలుస్తున్నారు. ఒకరు అంపారో."

రెండోవారు ఎవరని అడగడానికి భయమేసింది. ఆయనే చెప్పాడు.

"ఆ రోజు తొమాస్ రెండుసార్లు పిలిచాడు. నేను పక్క వరుసలో ఉన్నాను. 'వస్తున్నా' అన్నాను. వరుస అయ్యాక వెళ్ళాను." ఇంతే అన్నాడు. కాసేపటికి, "ఇప్పుడు అంపారో నన్ను ఆ మాటే అనమంటుంది" అన్నాడు.

మూడో పిలుపు వినిపించింది. ఈసారి గట్టిగా అరిచాను, "ఇక్కడ, ఈయన ఇక్కడే ఉన్నాడు" అని. నేను పలకనందుకు వాళ్ళు తప్పుడు వరుసలో కాలవ గట్టు దాకా పోయారట, గ్రేసియేలా ప్యాంటు మోకాళ్ళదాకా బురద. నన్ను ఒక్క చూపు చూసింది, ఆ చూపుకు నేను అర్హురాలినే. ఆయన చెప్పింది నేను చెప్పాను. అంపారో నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. గ్రేసియేలా మాత్రం బురదలోనే ఆయన ఎదురుగా గొంతుక్కూర్చుంది.

"మీరు కూడా అక్కడే ఉండిపోదామనుకుంటున్నారా, రెఫుహియోగారూ?"

ఆవిడ వదల్లేదు, అంతే నెమ్మదిగా మళ్ళీ అడిగింది. "చచ్చిపోదామనుకుంటున్నారా?"

నాకు పారిపోవాలనిపించింది, ఏదో ఒకటి మాట్లాడి ఆ ప్రశ్నను కప్పెయ్యాలనిపించింది.

"అవును" అన్నాడు ఆయన.

అంపారో ఏడవలేదు. వెళ్ళి ఆయన పక్కన తడి పైపు మీద కూర్చుంది. ఆ రోజు ఆవిడ మళ్ళీ ఆయన్ని పిలవలేదు. గ్రేసియేలా అడుగుతూనే ఉంది, ఎప్పటినుంచి, ఎలా అనుకున్నారు, ఇవాళ కూడానా, అని. ఆయన జవాబు చెబుతూనే ఉన్నాడు. తోట మందులుండే షెడ్డు తాళం ఆ పూట నుంచే పక్కింటివాళ్ళ దగ్గర ఉంటుందని అక్కడే తేల్చుకున్నారు. రొట్టెలు పెట్టాను, ఆయన ఒకటి తిన్నాడు.

పన్నెండున్నరకు లేచి తనంతట తనే కారు దాకా నడిచాడు. తలుపు తీసి ఎక్కబోయి ఆగాడు. తోట వైపు తిరిగి, భార్య రోజూ తనను పిలిచిన మాటలతోనే పిలిచాడు. "తొమాస్, రా. అక్కడ ఉండిపోకు." గట్టిగా కాదు, పక్క వరుసలో ఉన్న మనిషికి వినబడేంత. తర్వాత వెనక సీటులోకి ఎక్కి, మధ్యకు జరిగి, తలుపు పక్క చోటు వదిలేశాడు. తలుపు తెరిచే ఉంది, మంచు లోపలికి వస్తోంది. నేను స్టీరింగ్ పట్టుకుని అద్దంలో ఆ ఖాళీ చోటును చూస్తూ కూర్చున్నాను, ఇంజన్ వేయడానికి చెయ్యి రాలేదు. కొంచెం సేపయ్యాక అంపారో ఆ తలుపును, ఎవరి చెయ్యో నలుగుతుందన్నంత జాగ్రత్తగా, నెమ్మదిగా వేసింది. తను చుట్టూ తిరిగి వచ్చి రెండో పక్కన కూర్చుంది. అప్పుడు బయల్దేరాం.

క్లినిక్‌కు నలభై ఐదు నిమిషాలు, పది నిమిషాలు ముందే చేరాం. ఆయన గంటంబావు లోపలే ఉన్నాడు. బయటికొచ్చి వచ్చే గురువారం కాగితం అంపారో చేతిలో పెట్టాడు. వాళ్ళను ఇంటి దగ్గర దించేసరికి నాలుగు దాటింది, మంచు మళ్ళీ నేలలోంచి లేస్తోంది. ఐ-ఫైవ్ మీద ఒంటరిగా వస్తుంటే భయం వేయలేదంటే అబద్ధం. వెనక సీటు వైపు రెండుమూడుసార్లు చూశాను. కానీ నన్ను ఎక్కువ భయపెట్టింది తోట కాదు. ఆ ప్రశ్న అడిగితే లేని ఆలోచన పుట్టిస్తామేమో అని నేను ఇన్నేళ్ళూ నమ్మాను, నాతోపాటు మా చర్చి మొత్తం నమ్మింది. "అడిగితే పుట్టదు, ఉన్నది బయటికొస్తుంది" అంది గ్రేసియేలా, క్లినిక్ బయట షూలు దులుపుకుంటూ. ఆయన ఆ "అవును"ను నెల రోజులుగా ఒంటరిగా మోస్తున్నాడు, ఎవరో ఒకరు అడిగేదాకా దించడానికి చోటు లేదు.

ఇలాంటి ఇళ్ళకు వెళ్ళాలనుకునేవాళ్ళకు ఒకటే సలహా. ఆ రోజు మధ్యాహ్నం తర్వాత ఏ పనీ పెట్టుకోకండి, తిరుగు ప్రయాణానికి వేళ కూడా అనుకోకండి. మూడింటికి మీటింగ్ ఉన్న మనిషితో ఎవరూ "అవును" అనరు.