అత్తయ్య బండి దింపిన రోజు

మొన్న ఒక పెళ్ళికని జగ్గయ్యపేట వెళ్ళి, బస్టాండు పక్కన బత్తాయి రసం తాగుతూ నిలబడ్డాను. ఎదురుగా గోడమీద ఒక బోర్డు: "స్త్రీలకు కారు డ్రైవింగు నేర్పబడును. లేడీ టీచరు కలదు." ఆ బోర్డు కిందే ఒక అమ్మాయి, నేర్చుకుంటున్న కారుని రోడ్డు నడిమధ్యలో ఆపేసుకుంది. ముందు ఆటో, వెనక లారీ, పక్కన గేదెలు. గేదెలు తప్ప అందరూ హారన్లు కొడుతున్నారు. ఆ పిల్ల కంగారుపడలేదు. చున్నీ నడుం చుట్టూ బిగించి ముడేసుకుని, మెడ నిటారుగా పెట్టి, మళ్ళీ స్టార్టు చేసుకుని వెళ్ళిపోయింది. నా చేతిలో గ్లాసు చేతిలోనే ఉండిపోయింది. అలా మెడ నిటారుగా పెట్టి స్టీరింగు ముందు కూర్చున్న మా అత్తయ్యని నేను జన్మలో ఒక్కసారే చూశాను, నాకు పదిహేనేళ్ళప్పుడు. ఆ రోజు తెరిచిన నోరు మళ్ళీ ఎప్పుడు మూశానో నాకు గుర్తులేదు.

అత్తయ్య అంటే మా నాన్న చెల్లెలు. జగ్గయ్యపేటలో ఆడపిల్లల బడిలో కుట్లు, అల్లికలు నేర్పేది. మేము నందిగామలో ఉండేవాళ్ళం, నాన్నదీ బడిపంతులు ఉద్యోగమే. చిన్నతనంలో ఎవరైనా 'భయం' అంటే ఏమిటని అడిగితే నేను అత్తయ్యని చూపించేదాన్ని. చిల్లకల్లు దగ్గర హైదరాబాదు రోడ్డు దాటాలంటే నా చెయ్యి పట్టుకునేది, ఎనిమిదేళ్ళ నా చెయ్యి. బస్సెక్కితే కళ్ళు మూసుకుని, పెదాలు కదుపుతూ ప్రార్థన చేసుకుంటూ, ఊరొచ్చేదాకా తెరిచేది కాదు. తెలిసిన కండక్టర్లు టిక్కెట్టు చింపి ఒళ్ళో పెట్టి వెళ్ళిపోయేవారు. కారణం మా ఇంట్లో అందరికీ తెలుసు. మావయ్య ఏలూరు అవతల ఒక మిషను ఆసుపత్రిలో కాంపౌండరుగా ఉండేవాడట. ఒక వానాకాలం ఆసుపత్రి వ్యాను తోలుకుపోతూ, వాగు చప్టా మీంచి జారి బోల్తాపడి చనిపోయాడు. నేను పుట్టకముందు మాట. అప్పటికి అత్తయ్యకి పాతికేళ్ళు నిండలేదు, పిల్లల్లేరు. అప్పట్నుంచీ ఆవిడా, వాళ్ళ అత్తగారూ ఒకే ఇంట్లో ఉంటున్నారు. ఆ పెద్దావిణ్ణి మేమంతా మామ్మగారు అనేవాళ్ళం. కొడుకు మాటొస్తే ఆవిడ "చేతకానోడు బండి ముట్టుకోటమెందుకు" అని విసుక్కునేది. ఆ మాట అన్నప్పుడల్లా అత్తయ్య లేచి వంటింట్లోకి వెళ్ళేది. దుఃఖం అనుకునేవాళ్ళం.

మా నందిగామలో రిటైరైన చరిత్ర మేష్టారొకరుండేవారు. ఏటా క్రిస్మస్ సెలవుల్లో, పదిమందికి మించకుండా మనుషుల్ని పోగుచేసి, ఒక వ్యాను మాట్లాడి, కొండపల్లి కొండలు చూపించి పొద్దుగూకేసరికి ఎవరిళ్ళ దగ్గర వాళ్ళని దింపేవారు. ఎండా వానా లేకపోయినా చేతిలో నల్ల గొడుగు, మెళ్ళో తాడుకి ఈల. మలుపు మలుపుకీ ఈల ఊది మమ్మల్ని లెక్కపెట్టుకునేవారు. నడుస్తున్న వ్యానులోంచి మేం ఎక్కడికి పోతామో ఆయనకే తెలియాలి. అరవై నాలుగో అరవై అయిదో సరిగ్గా గుర్తులేదు, ఆ ఏడు మేమూ బయలుదేరాం. క్రిస్మస్‌కి మా ఇంటికొచ్చిన అత్తయ్యని అమ్మ రెండు రోజులు బతిమాలి, చివరికి నా పరీక్షల మీద ఒట్టు పెట్టి ఒప్పించింది. మామ్మగారు మోకాళ్ళ నొప్పులని జగ్గయ్యపేటలోనే ఉండిపోయింది. మా నలుగురితోపాటు మా చర్చి సంఘపెద్దగారు, ఆయన భార్య, మేష్టారు. వ్యాను ఎప్పుడో మిలిటరీ వాళ్ళు వేలం వేసింది. హ్యాండిల్ పెట్టి తిప్పితే తప్ప స్టార్టయ్యేది కాదు, హారను అసలే లేదు. డ్రైవరు చిల్లకల్లు మనిషి, ముప్పై ఏళ్ళుంటాయేమో, నవ్వుమొహం.

ఇప్పుడు కోటదాకా మంచి రోడ్డుందంటారు. మేం వెళ్ళింది అది కాదు. అడవిశాఖ వాళ్ళు కలప దింపుకోడానికి కొండ వెనకనుంచి వేసుకున్న కంకర బాట. ఒక బండికి సరిపోయే వెడల్పు. అడ్డుగోడ సంగతి దేవుడెరుగు, కొన్నిచోట్ల బాటకి అంచే లేదు. మంచు ఇంకా విడలేదు. తడిసిన ఆకుల వాసన, ఇంజను వేడి వాసన, అమ్మ వాంతి రాకుండా ముక్కు దగ్గర పెట్టుకున్న నిమ్మకాయ వాసన, మూడూ కలిసి ఇప్పటికీ నాకు కొండ అంటే అదే వాసన. మేష్టారు పొణికి చెట్లు చూపించి "ఇవే అమ్మా బొమ్మలయ్యే చెట్లు" అన్నారు. ప్రతి మలుపులోనూ ఒక రాజు శత్రువులకి చిక్కకుండా లోయలోకి దూకాడని చెప్పారు. నాలుగో రాజు దూకేసరికి సంఘపెద్దగారు ఉండబట్టలేక, "ఇంతమంది దూకితే రాజ్యం ఎవరేలారండీ మేష్టారూ?" అన్నారు. మేష్టారు మధ్యాహ్నందాకా ఆయనతో మాట్లాడలేదు. ఒక మలుపు తిరగ్గానే మంచు విడిపోయి, కింద ఎక్కడో కృష్ణ కనిపించింది, ఇసకలో తోవ తప్పిన మనిషిలాగా పాయలు పాయలుగా. నేను "అబ్బా" అన్నాను. అత్తయ్య కళ్ళు తెరవలేదు. పమిట కొంగు పిడికిట్లో నలిపేస్తోంది.

పైన చదునుగా ఉన్నచోట బండి ఆపి, చక్రాలకి రాళ్ళు అడ్డంపెట్టి, పులిహోర, పెరుగన్నం, పండక్కి చేసిన కజ్జికాయలు తిన్నాం. డ్రైవరు మాతోపాటే విస్తరాకు వేసుకుని తిన్నాడు. "ఇహ దిగుదామండీ, దిగుడు జాగ్రత్తగా దిగాలి" అంటూ లేచి వెళ్ళి, వెనక చక్రం కింద రాయి లాగబోయాడు. "అమ్మా!" అని ఒక్క కేక. మేం పరిగెత్తేసరికి చెయ్యి పట్టుకుని నేలమీద కూలబడి ఉన్నాడు. ఎండుటాకుల్లోకి జారిపోతున్న పాము తోక నేనూ చూశాను. "రక్తపింజర" అన్నారు మేష్టారు. అప్పటిదాకా ఆయన చెప్పినవాటిలో ఎవరూ అనుమానించని మాట అదొక్కటే.

ఆ తర్వాత కాసేపు ఎవరేం చేశారో చెప్పటం కష్టం. సంఘపెద్దగారి భార్య గట్టిగా ప్రార్థన మొదలెట్టింది. ఆయన జేబులోంచి బ్లేడు తీశారు. నాన్న కిందికి పరిగెత్తి ఎడ్లబండి తెస్తానంటున్నారు. కిందికి ఆరేడు మైళ్ళుంది. మేష్టారి గొడుగు ఎటో దొర్లిపోయింది. ఉన్న నలుగురు మగవాళ్ళలో బండి తోలటం తెలిసినవాడు ఒక్కడే, వాడే నేలమీద ఉన్నాడు. అతని చెయ్యి మా కళ్ళముందే వాస్తోంది. "నా పిల్లలు చిన్నోళ్ళండీ" అన్నాడు, ఎవరి వంకా చూడకుండా.

"కొయ్యద్దు. కోస్తే ఇంకా రక్తం పోద్ది" అని ఎవరో అన్నారు. ఆ గొంతు ఎవరిదో నాకు వెంటనే తెలియలేదు. అంత గట్టిగా అత్తయ్య మాట్లాడగా నేనెప్పుడూ వినలేదు. "ఆ చెయ్యి కదలనివ్వకండి. ఆయన్ని ముందు సీట్లో కూర్చోబెట్టండి" అని, చెప్పులు విడిచేసి, కొంగు నడుం చుట్టూ బిగించి, వ్యాను ఎక్కి స్టీరింగు ముందు కూర్చుంది.

"ఎక్కడ కూర్చున్నావే నువ్వు? దిగు!" అన్నారు నాన్న.

"అన్నయ్యా, ముందు హ్యాండిల్ తిప్పు. తర్వాత తిడుదువుగాని."

నాన్న తిప్పారు. ఇంజను అందుకుంది. సంఘపెద్దగారు కర్రతో చక్రాల కింద రాళ్ళు తోసేశారు, అందరం ఎక్కాం. గేరు మార్చినప్పుడు కరకరమని ఒక చప్పుడు, బండి ఒక్క కుదుపు కుదిపింది. అమ్మ "ఏసయ్యా" అని నన్ను గట్టిగా పట్టుకుంది. ఆ తర్వాత బండి మెల్లగా, మనిషి నడిచినంత మెల్లగా, దిగటం మొదలుపెట్టింది.

డ్రైవరు తల వెనక్కి వాల్చి, "దిగుట్లో న్యూట్రల్ చెయ్యకూడదమ్మా" అని గొణిగాడు.

"తెలుసు నాయనా. నువ్వు మాట్లాడకు." అని, వెనక్కి చూడకుండానే, "మేష్టారూ, హారను లేదు. మలుపు మలుపుకీ మీ ఈల ఊదండి" అంది.

మేష్టారు ఊదారు. అంతకుముందు అందరం నవ్వుకున్న ఈల ఆ దిగుడంతా మా ప్రాణంలా మోగింది. పొద్దున రాజులు దూకిన మలుపులు ఒక్కొక్కటే ఎదురొస్తున్నాయి. ఒకచోట వెనక చక్రం కింద కంకర జారి, రాళ్ళు లోయలోకి దొర్లిన చప్పుడు చాలాసేపు వినబడింది. అత్తయ్య బ్రేకు తొక్కలేదు, కేక వెయ్యలేదు. స్టీరింగుని కొంచెం లోపలికి తిప్పి పట్టుకుంది, అంతే. నేను లోయవంక చూడలేదు, ఆవిడ వంకే చూశాను. మెడ నిటారుగా ఉంది. కళ్ళు రెండూ తెరిచే ఉన్నాయి. ఈవిడ ఎవరు? మా ఇంటికొచ్చి కళ్ళు దించుకుని తిని వెళ్ళే అత్తయ్యేనా? పాముని చూసినప్పటికంటే ఆ క్షణాన నాకు ఎక్కువ భయం వేసింది.

కొండ దిగి, రోడ్డెక్కి, బెజవాడ పెద్దాసుపత్రి ముందు బండి ఆపేదాకా ఆవిడ ఇంకొక మాట మాట్లాడలేదు. దారిపొడుగునా జనం ఆగి నిలబడి చూశారు. ఆసుపత్రి గేటు దగ్గర జవాను సలాం కొట్టాడు, ఏ దొరసానో అనుకున్నాడేమో. డ్రైవర్ని స్ట్రెచరు మీద లోపలికి తీసుకుపోయారు. సాయంత్రానికి డాక్టరు బయటికొచ్చి, ఇంజక్షను పనిచేస్తోందనీ, ఇంకో గంట ఆలస్యమైతే చెప్పలేకపోయేవాళ్ళమనీ అన్నాడు. తర్వాత నెలకి అతను లేచి తిరిగాడు. రెండు వేళ్ళు మాత్రం జీవితాంతం వంగలేదు.

డాక్టరు మాట విన్నాక అత్తయ్య వరండాలో నేలమీద కూర్చుండిపోయింది. అమ్మ సోడా తెచ్చి తాగించింది. నాన్న ఎదురుగా గొంతుక్కూర్చుని, తిట్టడం మర్చిపోయి, "ఎప్పుడు నేర్చుకున్నావే?" అన్నారు.

"మిషను ఆసుపత్రిలో. డాక్టరు దొరసానమ్మ నేర్పింది. ఊళ్ళు తిరగటానికి మనిషి కావాలని."

"మాకెవరికీ చెప్పలేదే?"

అత్తయ్య కొంగుతో మొహం తుడుచుకుంది. "ఆ రోజు బండి తోలింది నేనే అన్నయ్యా" అంది.

నాన్నకి అర్థం కాలేదు. నాకు ముందు అర్థమైంది. అమ్మ నన్ను పక్కకి పంపుదామని చూసింది గానీ నేను కదల్లేదు. చప్టా మీద నీళ్ళు ఎంతున్నాయో చూసుకోకుండా తనే దించిందట. మావయ్య పక్కనున్నాడు. వ్యాను తిరగబడ్డాక ఆవిడ బయటపడింది, ఆయన కాళ్ళు ఇరుక్కుపోయాయి. "నీ పేరు బయటికొస్తే మొగుణ్ణి చంపిందంటారు, నిన్ను బతకనివ్వరు" అని ఆ దొరసానమ్మే, ఆయనే తోలాడనీ, ఆయనొక్కడే ఉన్నాడనీ అందరికీ చెప్పింది. చెప్పిన ఆవిడ రెండేళ్ళకి వాళ్ళ దేశం వెళ్ళిపోయింది. ఆ అబద్ధం మాత్రం అత్తయ్య దగ్గరే ఉండిపోయింది, పద్దెనిమిదేళ్ళు. నాన్న ఆవిడ తలమీద చెయ్యి వేశారు.

"నేను బండి తోలిన సంగతి రేపటికి పేటంతా తెలిసిపోద్ది. ఎవరో చెప్పేలోగా అత్తకి నేనే చెప్పుకోవాలి" అంది అత్తయ్య.

మర్నాడు పొద్దున్నే మొదటి బస్సులో ఆవిడతో నాన్నా నేనూ వెళ్ళాం. మామ్మగారు అరుగుమీద కూర్చుని కందిపప్పు ఏరుతోంది. అత్తయ్య ఆవిడ కాళ్ళదగ్గర కూర్చుని, తల ఎత్తకుండా, మొదటినుంచి చివరిదాకా చెప్పింది. చేట మొహాన విసిరికొడుతుందనుకున్నాను, జుట్టు పట్టుకుంటుందనుకున్నాను. మామ్మగారి వేళ్ళు పప్పులో ఆగిపోయాయి. "అయితే నువ్వు పక్కనున్నావా?" అంది.

"ఉన్నా అత్తా."

"చివరిదాకా?"

"చివరిదాకా. తల నా ఒళ్ళోనే."

"ఏవన్నా అన్నాడా?"

"నీకేం దెబ్బలు తగల్లేదు కదా అన్నాడు. రెండుసార్లు అడిగాడు."

అప్పుడు మామ్మగారు ఏడ్చింది. అంత ఏడుపు ముసలి ఒంట్లో ఎక్కడ దాగుందో అనిపించేలా ఏడ్చింది. "నా బిడ్డ ఆ నీళ్ళలో ఒక్కడే పోయాడనుకుంటన్నానే ఇన్నేళ్ళూ. పిలిస్తే పలికేవాళ్ళు లేక పోయాడనుకుంటన్నానే" అంటూ. కోపం రాలేదని కాదు. రెండు రోజులు అత్తయ్య చేతి అన్నం ముట్టలేదు. "చేతకానోడని నా నోటితో నా కొడుకుని తిట్టించావు" అని ఆ మాట ఎన్నోసార్లు అంది, అత్తయ్య ప్రతిసారీ పడింది. మూడో రోజు పొద్దున మంచంలోంచే, "కాస్త జావ కాచిపెట్టు" అని కేకేసిందట.

ఆ తర్వాత వాళ్ళిద్దరూ పదహారేళ్ళు కలిసి బతికారు. నేను సెలవులకి వెళ్ళినప్పుడు వంటింట్లోంచి ఇద్దరి మాటలూ వినబడేవి. ఎక్కువగా మావయ్య గురించే. ఆయనకి వంకాయ పడదనీ, నిద్రలో మాట్లాడేవాడనీ, ఒకరికి తెలియనివి ఒకరికి చెప్పుకునేవారు. ఒక్కోసారి నవ్వుకునేవారు కూడా. కాలమే అన్నిటినీ మాన్పుతుందని ఎవరైనా అంటే నేను ఊఁ కొడతాను గానీ, ఆ ఇంట్లో పద్దెనిమిదేళ్ళపాటు అది చేతులు కట్టుకుని గుమ్మం బయటే నిలబడి ఉంది. లోపలికి రమ్మని పిలవటానికి ఒక మనిషి నోరు తెరవాల్సి వచ్చింది.