మార్తమ్మ గారి పలక

మందు వాసన ఎంత ఘాటుగా ఉంటే అంత బాగా పనిచేస్తుందని మీకు ఎవరు చెప్పారు?

పోయిన వారం గుంటూరు నుంచి చిలకలూరిపేట వెళ్ళే బస్సులో కిటికీ పక్కన కూర్చున్నాను. రోడ్డు పక్క మిరప తోటలో ఎవరో మందు కొడుతున్నారు. గాలి మా వైపు తిరిగేసరికి కుళ్ళిన వెల్లుల్లి లాంటి వాసన బస్సంతా కమ్ముకుంది. ముందు సీట్లో ఒకామె కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకుంది. నా పక్కన ఉన్న రైతు మాత్రం నిండుగా ఒకసారి పీల్చి, "మంచి సరుకే కొడుతున్నాడండీ. చూశారా, ఎలా పట్టేసిందో" అన్నాడు. ఊళ్ళో పెళ్ళివంట వాసన తగిలినంత సంతోషం ఆయన మొహంలో. ఏం మందై ఉంటుందని అడిగాను. "పేరు నాకు తెలియదండీ. నేనూ అదే కొట్టాను. మా పక్క చేనాయన కొట్టాడని కొట్టాను" అన్నాడు. నాకు నవ్వు ఆగలేదు. తనను చూసి నవ్వుతున్నాననుకుని ఆయన కొంచెం నొచ్చుకున్నాడు. నిజానికి నేను నవ్వింది ఇరవై ఏళ్ళ కిందటి ఒక సాయంత్రం గుర్తొచ్చి. ఆ సాయంత్రం ఇదే జవాబు నేను చెప్పాను. అడిగిన మనిషి మార్తమ్మ గారు.

మార్తమ్మ గారు మా ఊరి మిరపకాయ కోతల ముఠాకు పెద్ద. పద్దెనిమిది మంది ఆడవాళ్ళు ఆమె మాట మీద ఒక చేలో దిగేవారు, ఆమె మాట మీద గట్టెక్కేవారు. పొట్టి మనిషి. ఆమె నడుస్తుంటే ఆ పద్దెనిమిది మందీ వెనక దాదాపు పరిగెత్తాల్సి వచ్చేది. ఆదివారం చర్చిలో ముందు వరసలో కూర్చుని పాట అందుకునేది. బైబిలు చదువుకోవడానికని పెద్దయ్యాక అక్షరాలు నేర్చుకుంది. ఆ అక్షరాలతోనే మందు డబ్బాల మీది సన్నటి రాత కూడా చదివేది. మా ఊళ్ళో అంతకు ముందు ఆ రాతను ఎవరూ చదివిన దాఖలా లేదు, డబ్బాలు అమ్మేవాడితో సహా.

అప్పుడు నేను డిగ్రీ పూర్తి చేసి, మూఢనమ్మకాల మీద యుద్ధం ప్రకటించిన రోజులు. నాలుక మీద కర్పూరం వెలిగించేవాణ్ణి, ఖాళీ చేతిలోంచి విబూది తీసేవాణ్ణి, అది ఎలా వచ్చిందో విప్పి చెప్పేవాణ్ణి. ఒక సాయంత్రం వాళ్ళ పేట బడి ఆవరణలో సభ పెట్టాను. పత్తి చేలో దిష్టిబొమ్మ నిలబెట్టేవాళ్ళనూ, గుమ్మానికి నిమ్మకాయ కట్టేవాళ్ళనూ ఏకి పారేశాను. ముఖ్యంగా సోదె చెప్పేవాళ్ళ మీద విరుచుకు పడ్డాను. మనిషిని చూడకుండా, జబ్బు తెలుసుకోకుండా మందు చెప్పేవాడు మోసగాడు, వాడి మాట వినేవాడు తెలివితక్కువవాడు అన్నాను. చప్పట్లు కొట్టారు. ప్రశ్నలుంటే అడగమన్నాను. అడగరనే ధైర్యంతో అన్నాను.

మార్తమ్మ గారు లేచింది. "అబ్బాయిగారూ, మొన్న మీ చేలో మూడు డబ్బాలు కలిపి కొట్టారు కదా. ఎందుకంటారు?"

"పురుగు పడింది."

"ఏం పురుగు?"

నాకు తెలియదు. "పక్క చేలో కొట్టారు. అందుకని మేమూ కొట్టాం" అన్నాను.

"పక్కవాళ్ళెందుకు కొట్టారు?"

"కొట్లో చెప్పి ఉంటారు."

"కొట్లో ఆయన చేలోకొచ్చి చూశాడా?"

"లేదు."

"మరి చూడకుండా మందు చెప్పేవాణ్ణి ఇందాక మీరేదో అన్నారే. నేను కొంచెం వెనక కూర్చున్నాను, సరిగ్గా వినపడలేదు. మళ్ళీ ఒకసారి చెప్పండి."

జనం నవ్విన నవ్వుకు బడి పైకప్పు రేకులు అదిరాయి. నేనూ నవ్వాల్సి వచ్చింది. ముందు సిగ్గుతో, తర్వాత నిజంగానే. నాలుక మీద నిప్పు పెట్టుకోవడం నేర్చుకున్నాను గానీ, ఇంట్లో మూడు డబ్బాలు కలిపే చోట ఎందుకని ఒక్కసారీ అడగలేదు. సభ అయిపోయాక ఆమె దగ్గరికి వెళ్ళి, "మీరు దేవుణ్ణి నమ్ముతారు కదా, ఇంత తర్కం ఎక్కడ నేర్చారు?" అన్నాను. "దేవుణ్ణి నమ్ముతానండీ. డబ్బా వాణ్ణి నమ్మను. దేవుడు నా చేత ఏదీ కొనిపించలేదు" అంది.

మర్నాడు పొద్దున్నే నన్ను మా చేలోకే తీసుకెళ్ళింది. మొక్కలు పూతలో ఉన్నాయి. నా జేబులోంచి ఒక సభ కరపత్రం లాక్కుని, తిరగేసి, ఖాళీగా ఉన్న వైపు పువ్వు కింద పట్టింది. వేలితో పువ్వును నాలుగుసార్లు దులిపింది. తెల్ల కాగితం మీద సన్నని నలకలు రాలాయి. నలకలు నడవడం మొదలుపెట్టాయి.

"ఇదే తామర పురుగు. లెక్క పెట్టండి. ఒక్క పువ్వు చూస్తే చాలదు, చేలో అక్కడక్కడ చూడాలి. కొంచెమే ఉంటే ఆగాలి. మించితేనే మందు. అదీ ఒక్కటే" అంది. తర్వాత కరపత్రం నాకు తిరిగిచ్చి, "వెనక వైపు తెల్లగా ఉంచి మంచి పని చేశారు. ముందు వైపు కూడా అలాగే ఉంచితే ఇంకో పువ్వు దులపొచ్చు" అంది.

ఒక ఆకు మీద ఎర్రగా గుండ్రంగా అక్షింతల పురుగు కూర్చుని ఉంది. అది మొక్క రసం పీల్చే పేనుబంకను తింటుందట. సాలీడు కూడా మనవైపేనట. "మీ నాన్నగారి మందుకు ముందు చచ్చేది ఇవేనండీ. కాపలావాణ్ణి కాల్చేసి దొంగ కోసం వెతుకుతారు" అంది. ఆ గంటలో నేర్చుకున్నంత నేను కాలేజీలో మూడేళ్ళు నేర్చుకోలేదు. ఇంటికొచ్చి మా నాన్న రాఘవయ్య గారికి చెప్తే, "పురుగులకి హాజరు వేస్తూ కూర్చుంటే చేను మిగలదురా" అన్నారు. ఊరంతటితో వాదించేవాణ్ణి, నాన్నతో కాదు.

తొలి కోత వచ్చింది. కాయ ఎర్రగా పండింది. కోతకు ఇంకో రోజు ఉందనగా పక్క చేలో మందు కొట్టారు. నాన్న ఆగలేకపోయారు. సాయంత్రం మూడు డబ్బాలు కలిపి మేమూ కొట్టాం. ఒక డబ్బా మీద ఎర్ర ముక్కోణం ఉంది, అన్నిటికన్నా ఘోరమైన విషానికి వేసే గుర్తు. పైపు పట్టుకున్నది నేనే. మర్నాడు మబ్బు పట్టింది. ఆ రోజు తప్పితే ముఠా మళ్ళీ ఎప్పుడు దొరుకుతుందో తెలియదు. వాన పడితే పండుకాయ మచ్చబారుతుంది. "మందు సంగతి ఎత్తకు" అన్నారు నాన్న. సరేనన్నాను.

పద్దెనిమిది మందీ సంచులతో వచ్చారు. వాళ్ళలో ఒకామెకు ఆరో నెల. మార్తమ్మ గారు గట్టు మీదే ఆగి గాలి పీల్చింది. "ఎప్పుడు కొట్టారు రాఘవయ్య గారూ?"

"ఎప్పుడో కొట్టాంలే. దిగండి, మబ్బు కమ్ముకొస్తోంది."

ఆమె నా వైపు తిరిగింది. "అబ్బాయిగారూ, మీరు చెప్పండి."

నేను మాట్లాడలేదు. సత్యం, హేతువు, ధైర్యం అంటూ ఊరూరా గొంతు చించుకున్నవాణ్ణి, మా గట్టు మీద నా చెప్పుల వైపు చూస్తూ నిలబడ్డాను. ఆమె ఒక్క క్షణం చూసి, వంగి ఒక పండుకాయ తుంచి, నాన్నకు అందించింది.

"ఒక్కటి కొరకండి. మీరు కొరికితే మేం దిగుతాం."

ఊదితే జబ్బు పోతుందన్నవాళ్ళను నేను అడిగేది కూడా అదే కదా, నా కళ్ళ ముందు చేసి చూపించమని. నాన్న కాయ తీసుకున్నారు. ఆయన మొండి మనిషి. పద్దెనిమిది మంది చూస్తుండగా వెనక్కి తగ్గడం ఆయనకు తెలియదు. చెయ్యి నిజంగానే నోటి దాకా వెళ్ళింది.

"నాన్నా, వద్దు" అన్నాను. "నిన్న సాయంత్రమే కొట్టాం మార్తమ్మ గారూ. మూడు కలిపాం."

నాన్న కాయను కాలవలోకి విసిరేసి ఇంటి దారి పట్టారు. ఆడవాళ్ళు సంచులు భుజాన వేసుకున్నారు. వాళ్ళలో ఒకామె, "అబ్బాయిగారి నోట్లో కర్పూరం ఆరడానికి ఇంతసేపు పట్టింది" అంది. నవ్వుకుంటూ ఇంకో చేలోకి వెళ్ళిపోయారు.

వాన పడలేదు. మార్తమ్మ గారు ప్రార్థన చేశానంది. దానికీ దీనికీ సంబంధం లేదని నేనన్నాను. "లేదని మీరెట్లా తేల్చారు? కాగితం మీద దులిపి చూశారా?" అంది. ఈ వాదన మా మధ్య చివరిదాకా తెగలేదు. తెగకూడదని ఇద్దరికీ ఉండేదనుకుంటాను.

నాలుగు రోజులు బిగుసుకు కూర్చుని, ఐదో రోజు నాన్న స్వయంగా ఆమె ఇంటికి వెళ్ళారు. నన్నూ రమ్మన్నారు. "ఏమ్మా, చేను ఎండబెట్టి పోతారా ఏంటి?" అన్నారు గుమ్మంలోంచే.

"చేను మీది, మీ ఇష్టం. ఏం కొట్టుకుంటారో కొట్టుకోండి. చేతులు మావి, మా ఇష్టం" అందామె. లోపలికి వెళ్ళి, మనవరాలి పాత పలక తెచ్చి నాన్న చేతిలో పెట్టింది. "ఏ మందు కొట్టారో, ఏ రోజు కొట్టారో దీని మీద రాసి మోటారు షెడ్డు తలుపుకు తగిలించండి. ఎన్ని రోజులు ఆగాలో డబ్బా మీద ఉంటుంది, నేను చూసుకుంటాను. రోజులు నిండితే మీరు పిలవక ముందే వస్తాం."

నాన్న పలక వైపు, ఆమె వైపు మార్చి మార్చి చూశారు. "నాకీ వయసులో బడా?" అన్నారు. "పంతులమ్మ దొరికింది, అదృష్టం అనుకోండి" అంది. ఆయన మొహం అటు తిప్పుకున్నారు. నవ్వు దాచుకోవడానికని నాకు తెలుసు.

తర్వాత జరిగింది నేను ఎన్ని సభలు పెట్టినా సాధించలేనిది. పలక చిన్నది, మూడు మందుల పేర్లు పట్టవు. పైగా దారిన పోయే ప్రతివాడూ ఆగి చదవడం మొదలుపెట్టాడు. "ఏం రాఘవయ్యా, మళ్ళీ కొట్టావా? వారం కాలేదే" అని రచ్చ చేసేవారు. మరుసటి ఏడు పూత మీద నాన్న నన్ను పక్కకు పిలిచి, ఎవరూ వినకుండా, "ఒరేయ్, నీ కరపత్రాలు ఇంకా మిగిలాయా?" అన్నారు. ఆయన కళ్ళజోడు పెట్టుకుని కాగితం మీద పురుగులు లెక్కపెట్టడం చూసి పొట్ట చెక్కలయ్యేలా నవ్వాను. ఆ ఏడు మందు సగానికి తగ్గింది. రెండు మూడేళ్ళలో ఊళ్ళో చాలా షెడ్లకు పలకలు వేలాడాయి. జనం మంచివాళ్ళయిపోయారని కాదు. పలక లేని చేలో మార్తమ్మ గారి ముఠా దిగదు, కోతకు వేరే చేతులు దొరకవు. హేతువాదం ఇల్లిల్లూ తిరిగి బతిమాలితే రాదని, పని ఆగితే వస్తుందని అప్పుడే తెలుసుకున్నాను.

ఇప్పుడు మా వైపు సేద్యం ఎలా ఉందో మీకు తెలుసు. భూమి ఒకరిది, చెమట కౌలుదారుది, సలహా కొట్టువాడిది. కొట్టువాడి పక్కన ఇప్పుడు ఫోను కూడా చేరింది, అందులో ఎవరో చేను చూడకుండానే మందు చెబుతున్నాడు. నల్ల తామర పురుగు వచ్చిన ఏడు భయంతో రోజు విడిచి రోజు కొట్టారు, అయినా తోటలు పోయాయి. మార్తమ్మ గారి మాట విన్నవాళ్ళ తోటలన్నీ నిలిచాయని అబద్ధం చెప్పను. కొన్ని నిలిచాయి, కొన్ని పోయాయి. పోయిన తోటల్లో కూడా ఆమె ముఠాలో ఒక్కరూ కళ్ళు తిరిగి పడలేదు.

ఆమె పోయి మూడేళ్ళు. అంతకు కొన్ని నెలల ముందు, ఆమె మీద రాసిన వ్యాసం పట్టుకెళ్ళి చదివి వినిపించాను. చూపు తగ్గింది గానీ చెవులు చురుగ్గానే ఉన్నాయి. పేరు పక్కన గారు అని వచ్చినప్పుడల్లా నవ్వింది. "గారు పెడితే కాయ ఎక్కువ కాస్తుందా ఏంటి?" అంది. చివరిదాకా విని, "బాగా రాశారు. నన్ను బాగా పొగిడారు. మరి ఆ రోజు గట్టు మీద మీరు నోరు మూసుకున్న ముక్క ఏది? అది లేకపోతే ఆ కాయ నేనెందుకు తుంచానో చదివేవాళ్ళకెట్లా తెలుస్తుంది?" అంది.

ఇదిగో, రాశాను మార్తమ్మ గారూ. ఆ ఒక్క నిమిషం నాతోనే ఉంది. ఎక్కడ ఎవరి తప్పు ఎత్తి చూపబోయినా ముందు అది అడ్డం వచ్చి నిలబడుతుంది. నిలబడనిస్తాను. దానివల్లే నా మాటలో కొంచెం నిజం మిగిలిందని నమ్మకం.

ఇక మీరు. చేను ఉంటే, ఏ మందు కొట్టారో, ఏ రోజు కొట్టారో కూలీలు రాకముందే గట్టు మీద రాసి పెట్టండి. చేను మీది కాకపోయినా, పైపు పట్టుకున్నది మీరైతే, చూసింది మీరైతే, దిగబోయే మనిషితో చెప్పండి. ఆమె అడిగేదాకా ఆగకండి.