చంద్రుడు మూడు గుంటలు

మా అమ్మాయి చదివే బడిలో ఏడాదికి ఒక్కరోజు తెలుగు మాట్లాడొచ్చు. మిగతా రోజుల్లో మాట్లాడితే డైరీలో ఎర్రసిరాతో రాసి ఇంటికి పంపుతారు. ఆ ఒక్కరోజు మాత్రం మాట్లాడకపోతే ఊరుకోరు. దాని పేరు 'మాతృభాషలో విజ్ఞాన ప్రదర్శన'. ఆ సంగతి తెలియజేస్తూ మాకొచ్చిన సర్క్యులర్ మాత్రం ఇంగ్లీషులో ఉంది.

ఆరో తరగతి పిల్లలకు చీటీలు వేసి అంశాలు పంచారు. అదృష్టవంతులకు అగ్నిపర్వతం వచ్చింది. వంటసోడా మీద వెనిగర్ గుమ్మరిస్తే బుస్సుమని పొంగుతుంది, చూసినవాళ్లు చప్పట్లు కొడతారు, నోరు తెరవాల్సిన పనే లేదు. మా పిల్ల చీటీలో 'గ్రహాల ఉపరితల వైశాల్యాలు: నిష్పత్తులు, శాతాలు' అని ఉంది. అందులో పొంగేది లేదు, పేలేది లేదు. అన్నీ మాటలతో చెప్పాల్సిందే.

మాతృభాష అంటే తల్లి భాష. తల్లిని నేను. నాది ఈ శంషాబాద్ పక్కనే ఉన్న పాల్మాకుల. కానీ మా ఇంట్లో చెల్లుబాటయ్యే తెలుగు మా అత్తగారిది. ఆవిడది తెనాలి వైపు. ఉద్యోగమంతా హైస్కూల్లో లెక్కలు చెప్పి రిటైరయ్యారు. లెక్కలతో పాటు పక్కవాళ్ల మాటలు కూడా దిద్దడం ఆవిడకు అలవాటైపోయింది. పెళ్లయిన కొత్తలో నేను 'వస్తున్న' అంటే, ఆవిడ 'వస్తున్నాను' అని మిగతా ముక్క అందించేవారు, నేనేదో తొందరలో కింద పడేసుకున్నట్టు. పాపం, ఏనాడూ కోప్పడలేదు. కోప్పడితే నేనూ ఒక మాట అని ఊరట పడేదాన్ని.

ఎయిర్‌పోర్టులో నా ఉద్యోగం సమాచార కౌంటర్లో. అక్కడా అదే తెలుగు. 'కుడివైపు వెళ్లండి', 'దయచేసి వేచి ఉండండి'. యూనిఫాం విప్పి ఇంటికొచ్చినా కౌంటర్ మారిందనిపిస్తుందే గానీ డ్యూటీ అయిపోయినట్టు ఉండదు. ఇది కూడా ఆవిడ తెలుగులోనే రాస్తున్నాను. నా తెలుగులో రాస్తే అచ్చేసేవాళ్లు దిద్దుతారు, ఆ శ్రమ వాళ్లకెందుకని.

పిల్ల నానమ్మ చేతుల్లో పెరిగింది. ముత్యాల్లాంటి తెలుగు. విన్నవాళ్లంతా మెచ్చుకుంటారు. ఆ మాటల్లో నేను మాత్రం ఎక్కడా లేను, అది నాకు ముల్లులా గుచ్చుకునేది. పాల్మాకుల వెళ్లినప్పుడల్లా "మీ వాళ్లు 'ఏంది' అంటారేంటమ్మా?" అని అడిగేది. 'మీ వాళ్లు' అంటే ఎవరో కాదు, దాని తాత, దాని మేనమామ. అందుకే ఆ చీటీ చూసినప్పుడు నాకు ఒక్క కోరికే పుట్టింది. మాతృభాష అని బడివాళ్లే రాశారు కాబట్టి, ఆ ఒక్కరోజన్నా నా మాట ఒకటి దాని నోట్లోంచి రావాలి. బహుమతి వస్తే వచ్చింది, లేకపోతే లేదు.

లెక్కంతా అత్తగారే చెప్పారు. చెప్పడంలో ఆవిడకు వంక పెట్టలేం. గోళం ఎంత పెద్దదైనా దాని ఉపరితల వైశాల్యం వ్యాసార్థం వర్గాన్ని బట్టి ఉంటుందట. అంగారకుడి వ్యాసార్థం భూమిలో సగాని కన్నా కాస్త ఎక్కువ. కానీ వైశాల్యం సగం కాదు, ఇరవై ఎనిమిది శాతమే. "సగం సైజులో ఉంటే సగం జాగా ఉండాలి కదా" అని పిల్ల మొండికేసింది. ఆవిడ ఒక పెద్ద బత్తాయి, దాంట్లో సగముండే చిన్నది తెప్పించి, రెండిటి తొక్కలూ ఒలిచి కాగితం మీద పరిచారు. పెద్దదాని తొక్క పరిచిన చోట చిన్నదాని తొక్కలు నాలుగు పడతాయని తేలింది. అప్పటికి పిల్ల ఒప్పుకుంది. ఒలిచిన బత్తాయిలు వృథా కాకుండా నేను తిన్నాను. ఖగోళ శాస్త్రానికి నా వంతు సేవ అదే.

"ఇప్పుడు భూమిని ఒక ఎకరం అనుకో" అన్నారు ఆవిడ. "ఎకరానికి వంద సెంట్లు. కాబట్టి శాతమన్నా సెంటన్నా ఒకటే. శుక్రుడు తొంభై సెంట్లు. అంగారకుడు ఇరవై ఎనిమిది. బుధుడు పదిహేనుకి కాస్త తక్కువ. చంద్రుడు గ్రహం కాదు, అయినా పోలిక కోసం చెప్పు, ఏడు సెంట్ల పైచిలుకు. గురుడైతే ఏకంగా నూట ఇరవై రెండు ఎకరాలు."

నిజం చెప్పొద్దూ, ఎంత సులువుగా చెప్పారో! కాకపోతే మా పాల్మాకులలో సెంటు అంటే పెళ్లికి పోయేటప్పుడు చొక్కా మీద కొట్టుకునేది. శుక్రుడు తొంభై సెంట్లంటే మావాళ్లు ముక్కు మూసుకుంటారు.

ఆదివారం చార్టు చుట్టచుట్టి పిల్లను మా బాపు దగ్గరికి తీసుకుపోయాను. బాపుకు ఇప్పుడు భూమి లేదు. ఉన్నదంతా ప్లాట్లయి గజాల్లోకి వెళ్లిపోయింది. గుంటలు మాత్రం ఆయన నోట్లో మిగిలాయి. ఎకరానికి నలభై గుంటలు. మా వైపు కాగితాల్లో చుక్కకు ముందుంటే ఎకరాలు, చుక్క తర్వాత ఉంటే గుంటలు. ఒకటి చుక్క ఇరవై అంటే ఎకరన్నర. ఈ పద్ధతి దశాంశాలు కనిపెట్టినవాడికి తెలియదు, దశాంశాలు కనిపెట్టినవాడు మా బాపుకు తెలియదు.

చార్టు మీద భూమి 1.00, శుక్రుడు 0.90, అంగారకుడు 0.28, చంద్రుడు 0.07 అని రాసి ఉంది. బాపు అద్దాలు పెట్టుకుని చదివాడు.

"అంగారకుడు ఇరవై ఎనిమిది గుంటలా? మంచిగనే ఉన్నది. ముప్పావు ఎకరానికి రెండు గుంటలే తక్కువ."

బత్తాయి తొక్కలతో నిరూపించిన పావు ఎకరం ఒక్క చూపుతో ముప్పావు అయిపోయింది. మా వైపు రియల్ ఎస్టేట్ ఊరికే పెరగలేదు.

"శుక్రుడు తొంభై గుంటలని రాసినవేంది బిడ్డా?" అన్నాడు మళ్లీ. "నలభై దాటంగనే ఎకరం అయితది గద. రెండెకరాల పది గుంటలు. గట్ల రాయాలె."

"శుక్రుడు భూమి కన్నా చిన్నది తాతా!"

"చిన్నదెట్లయితది? భూమి ఎకరమే ఉండె, శుక్రుడు రెండెకరాలు దాటిండు."

అంతలో పైనుంచి విమానం పోయింది. అందరం నోళ్లు మూసుకున్నాం. అది దాటాక బాపు ఆపినచోట నుంచే అందుకున్నాడు. "ఇగ రాహుకేతువులేరి? ఆళ్లకేం జాగ లేదా?"

పిల్ల పకపకా నవ్వింది. పాల్మాకులలో అది అంతగా నవ్వడం నేను చూడలేదు. తర్వాత పెన్సిల్ తీసుకుని అరుగు మీద తాత పక్కనే కూర్చుంది. నూటికి ఇరవై ఎనిమిదైతే నలభైకి ఎంత? పదకొండు గుంటలు, పైన కొంచెం. శుక్రుడు ముప్పై ఆరు గుంటలు. బుధుడు ఆరు. చంద్రుడు మూడు. లెక్క తేలాక బాపు కూడా తల ఊపాడు. "మూడు గుంటలు. ఇగ సక్కగైంది. నాలుగు సాళ్లు చిక్కుడు పెట్టుకోవచ్చు."

"అమ్మా, మీ గుంటల్లోనే చంద్రుడు బాగా కుదిరాడు" అంది పిల్ల ఇంటికొస్తుంటే. మీ గుంటలు! చంద్రుడి దాకా పోయి వచ్చినా ఆ 'మీ' మాత్రం కదల్లేదు.

ఇంటికొచ్చాక అత్తగారు విని కళ్లజోడు సవరించుకున్నారు. "గుంట అంటే గొయ్యి కదమ్మా. గ్రహాలను గోతులతో కొలుస్తామా?"

"ఇక్కడ భూమి కొలిచేది గుంటల్లోనే అత్తయ్యా" అన్నాను.

"నేను కాదనను. జడ్జీలకు తెలియాలిగా. సెంట్లని చెప్తే గొడవ లేదు."

మా ఆయన్ని అడిగితే "రెండూ కరెక్టే" అన్నారు. ఆయన పని కార్గోలో. ఇంట్లో ఏ తగవొచ్చినా సరుకు సర్దినట్టు రెండువైపులా సమానంగా సర్దేసి షిఫ్టుకు వెళ్లిపోతారు. నా మాట పలకమని బలవంతం చేస్తే అది నా మాట ఎట్లవుతుంది? పిల్ల ఇష్టానికి వదిలేశాను. వదిలేశానన్న మాటే గానీ నాకు కునుకు పట్టలేదు.

ప్రదర్శన హైవే పక్కన ఒక ఫంక్షన్ హాల్లో పెట్టారు. శంషాబాద్‌లో బడికి హాలు లేకపోవచ్చు గానీ ఫంక్షన్ హాళ్లకు కరువు లేదు. ముందురోజు పెళ్లి అలంకరణ ఇంకా తీయలేదు. మా పిల్ల బల్లను పెళ్లికూతురి కుర్చీ పక్కనే వేశారు. ఎవరో తల్లి, తన కొడుకు అగ్నిపర్వతం మీద మా శని దృష్టి పడుతోందని, ఆ బల్లను అవతలికి జరిపించుకుంది. విజ్ఞాన ప్రదర్శన అంటే అదే మరి.

నేను డ్యూటీ నుంచి యూనిఫాంలోనే పరుగెత్తుకొచ్చాను. అత్తగారు అప్పటికే బల్లకు ఒక పక్క నిలబడి ఉన్నారు. నేను ఇంకో పక్క నిలబడ్డాను. జడ్జిగారు ఏదో కాలేజీలో లెక్చరర్. మెడలో బ్యాడ్జీ, ముఖంలో దయ.

పిల్ల మొదలుపెట్టింది. వ్యాసార్థం, వర్గం, నిష్పత్తి, శాతం, ఎక్కడా తడబడలేదు. అత్తగారి పెదవులు దాంతో పాటే కదులుతున్నాయి. జడ్జిగారు ముచ్చటపడి, "మరి చంద్రుడెంతమ్మా? అందరికీ అర్థమయ్యేలా చెప్పు" అన్నారు.

పిల్ల చార్టు మీది చంద్రుణ్ని వేలితో చూపించింది. "భూమి ఎకరమైతే, చంద్రుడు మూడు గుంటలు సార్" అంది.

"మూడేనా!" ఆయన గట్టిగా నవ్వారు. "చంద్రుడి మీద వేలకొద్దీ గుంటలుంటాయమ్మా. ఫోటోల్లో ఎప్పుడూ చూడలేదా?"

చుట్టూ ఉన్నవాళ్లు కూడా నవ్వారు. ఆయన దృష్టిలో గుంట అంటే చంద్రుడి మీద ఉల్కలు పడి ఏర్పడ్డ గొయ్యి. పిల్ల చెవులు ఎర్రబడ్డాయి. "సెంట్లు... సెంట్లు అను" అని అత్తగారు గొంతు తగ్గించి అందిస్తున్నారు. నాకు ఏడుపొచ్చింది. ఆ క్షణంలో నాక్కూడా అది సెంట్లనేసి బయటపడితే చాలనిపించింది. నా గుంటలూ వద్దు, నా పాల్మాకులా వద్దు, పిల్లను చూసి నవ్వడం ఆపితే అంతే చాలు.

పిల్ల మా ఇద్దరిలో ఎవరివైపూ చూడలేదు.

"గవి గుంతలు సార్" అంది. "నేను చెప్పేవి గుంటలు. మా దిక్కు జాగ గుంటలల్ల కొలుస్తరు. నలభై గుంటలైతే ఎకరం."

మా దిక్కు అంది. నేను నేర్పలేదు, అడగలేదు. అది ఎప్పుడు విన్నదో, ఎక్కడ దాచుకుందో నాకు తెలియదు. యూనిఫాంలో ఉన్న మనిషి ఏడిస్తే బాగుండదని గ్రహాలవైపు తిరిగి నిలబడ్డాను.

జడ్జిగారు "ఓహో" అని కాగితం మీద ఏదో రాసుకుని అగ్నిపర్వతం వైపు నడిచారు. అది పొంగింది, చప్పట్లు పడ్డాయి, మొదటి బహుమతి దానికే వచ్చింది. మా పిల్ల కాగితం మీద 'విషయం బాగుంది, భాష మెరుగుపడాలి' అని ఉంది. మాతృభాషా ప్రదర్శనలో తల్లి మాటకు వచ్చిన మార్కులవి.

కారెక్కినప్పటినుంచీ అత్తగారు మండిపడుతూనే ఉన్నారు. "నలభైకి మూడంటే నూటికి ఏడున్నర. నిష్పత్తి సరిపోయిందా లేదా? దిద్దేవాడికి కొలత తెలియకపోతే అది పిల్ల తప్పా?" ఆ కోపం లెక్క కోసమే గానీ నా కోసం కాదని నాకు తెలుసు. అయినా వినడానికి ఎంత హాయిగా ఉందో చెప్పలేను. గగన్‌పహాడ్ దగ్గర లారీల వెనక ఇరుక్కున్నాం. అప్పుడు బాపు ఫోన్ చేశాడు. పిల్లే ఎత్తి స్పీకర్‌లో పెట్టింది.

"ఏమైంది బిడ్డా? గెలిచినవా?"

"ఓడిపోయినం తాతా."

ఓడిపోయాం అనలేదు. మా అత్తగారు ముందు సీట్లోంచి గిరుక్కున వెనక్కి తిరిగారు. ఆవిడ పిల్ల మొహంలోకి కాసేపు చూసి, మళ్లీ రోడ్డువైపు తిరిగి కూర్చున్నారు. దిద్దలేదు.