తుర్రుమణికి కొసరు

మేకుల కొట్లో ఎవరూ కొసరు అడగరు. మా మేనత్త అడక్కుండానే ఇస్తుంది. పావుకిలో మేకులు తూచి, పొట్లం కట్టబోతూ ఆగి, డబ్బాలో చెయ్యి పెట్టి ఇంకో గుప్పెడు తీసి పైన వేస్తుంది. గొలుసు కొంటే రెండు లింకులు ఎక్కువ. తాడు కొంటే కొలత అయ్యాక ఇంకో జానెడు వదిలి కోస్తుంది. ఈ వీధిలో ఏ ఇంట్లో ఏ సొరుగు లాగినా అక్కరకు రాని మేకులు గలగలమంటాయి. అవన్నీ మా అత్తయ్య పుణ్యమే. అందరూ ఆవిణ్ణి కొసరమ్మ అంటారు. ఆ పేరంటే ఆవిడకు ఇష్టమే కానీ, ఎదురుగా ఎవరైనా అంటే మాత్రం "ఎవరా కొసరమ్మ?" అని గుడ్లురుముతుంది.

రోడ్డుకు అవతల ఉన్నది మా చిన్నాన్న కొట్టు. అత్తయ్యకు సొంత తమ్ముడు. తాతయ్య కొట్టును ఇద్దరూ పంచుకున్నప్పుడు పాత తక్కెడ అత్తయ్య వాటాకు వచ్చింది. చిన్నాన్న వెళ్ళి కరెంటు కాటా కొనుక్కున్నాడు. అంకె సరిపోకపోతే పెద్ద మేకు తీసి చిన్నది వేస్తాడు, అదీ కుదరకపోతే ఇంకాస్త చిన్నది వెతుకుతాడు. ఒక్క గ్రాము తగ్గించడు, ఆ మాట ఒప్పుకోవాలి. ఒక్క గ్రాము పెంచడు కూడా. జనం ఆయనకు గ్రాముబాబు అని పేరు పెట్టారు. అక్కాతమ్ముళ్ళిద్దరూ పొద్దున్నే ఒకేసారి షట్టర్లు ఎత్తుతారు, ఎవరి షట్టరు ముందు పైకి వెళ్ళిందో ఓరకంట చూసుకుంటారు.

నేను అత్తయ్య కొట్టు మీది గదిలో కూర్చుని వీడియో గేములు చేస్తాను. చేస్తాను అంటే ఒకటే చేశాను, అదీ ఇంకా పూర్తి కాలేదు. వింత జంతువుల్ని పట్టి, పెంచి, పోటీకి దింపే గేము. బయటికి వదిలే ముందు ఎవరైనా ఆడి తప్పులు చెప్పాలి కదా. జీతం ఇవ్వకుండా పని చేయించుకోవడానికి చుట్టాలను మించినవాళ్ళు లేరు. ఇద్దరి ఫోన్లలోనూ వేసిపెట్టాను. అదే నేను చేసిన తెలివితక్కువ పని.

అత్తయ్య పట్టిన జంతువు పేరు తుర్రుమణి. ఉడుతంత ఒళ్ళు, గిన్నెలంత కళ్ళు, ఎప్పుడూ ఎవరో తరుముతున్నట్టు పరుగు. చిన్నాన్నది గీకుబల్లి. పేరుకు తగ్గట్టే ఉంటుంది. మొదటిరోజే అత్తయ్య నన్ను కిందికి పిలిచి, ఈ జంతువుల బలాబలాలు ఎలా లెక్క కడతావో చెప్పమంది. అయిదు సంగతులు చూస్తానని చెప్పాను. అది ఏ జాతిది, పుట్టుకతో ఏం తెచ్చుకుంది, ఎలా పెంచారు, ఎన్నో లెవెల్లో ఉంది, స్వభావం ఏమిటి.

"జాతి, పుట్టుక రెండూ ఒకటే కదే?" అంది.

"కాదత్తయ్యా. ఒకే జాతిలో పుట్టిన రెండూ ఒకేలా ఉండవు."

"అర్థమైంది. నేనూ మీ చిన్నాన్నా లాగ." రోడ్డు అవతలికి వినపడేలాగే అంది. "స్వభావం సంగతేమిటి?"

"స్వభావం ఒకదాన్ని పదోవంతు పెంచి, ఇంకోదాన్ని పదోవంతు తగ్గిస్తుంది. నీ తుర్రుమణిది కంగారు స్వభావం. వడి పెరుగుతుంది, బలం తగ్గుతుంది."

"అచ్చం నువ్వే," అని ముద్దుగా నా బుగ్గ గిల్లింది. నాకు ఒళ్ళు మండింది కానీ ఏమనగలను, నిజమే.

ఆ వారమంతా అత్తయ్య గిరాకీల మధ్య తుర్రుమణిని పెంచింది. ఒకరోజు మధ్యాహ్నం ఇద్దరూ సరదాకు పోటీ పెట్టుకున్నారు. గీకుబల్లి ముందు కదిలింది, ఒక్క గీకు గీకింది, తుర్రుమణి పడిపోయింది. నిమిషం తిరక్కుండా అత్తయ్య నా గదిలో ఉంది. మెట్లెక్కిన ఆయాసం తగ్గకముందే అడిగింది.

"వాడి బల్లి వడి డెబ్భై అయిదట, నాది డెబ్భై నాలుగట. లెక్క చూపించు."

చూపించాను. తుర్రుమణి జాతికి వడి యాభై అయిదు, రెట్టింపు చేస్తే నూటపది. పుట్టుకతో తెచ్చుకున్నది ఎనిమిది. పెంపకంలో వడికి వేసిన మార్కులు ముప్ఫై ఆరు, నాలుగు మార్కులకు ఒకటి లెక్కన తొమ్మిది. మొత్తం నూట ఇరవై ఏడు. వంద లెవెళ్ళలో యాభైలో ఉంది కనక అందులో సగం.

"అరవై మూడున్నర," అంది అత్తయ్య.

"అవును. అర తీసేస్తాం. అరవై మూడు."

"ఆగు. అర ఎక్కడికి పోయింది?"

"ఎక్కడికీ పోదు. ముక్కలుంటే వదిలేస్తాం. తర్వాత అందరికీ ఇచ్చే అయిదు కలిపితే అరవై ఎనిమిది. కంగారు స్వభావానికి పదోవంతు కలిపితే డెబ్భై నాలుగు పాయింటు ఎనిమిది. ఆ పాయింటు ఎనిమిది కూడా..."

"తీసేస్తావు."

"తీసేస్తాను."

అత్తయ్య కుర్చీలో కూలబడింది. నేను ఎవరి ఇల్లో కూల్చినట్టు నావంక చూసింది. "కొసరు ఇవ్వకపోతే పోయావు, ఉన్నదాంట్లోంచి కోస్తావుటే? అదీ రెండుసార్లు? మన ఇంట్లో పుట్టి?"

ఆ ముక్కలు కోయకపోతే తుర్రుమణి వడి డెబ్భై అయిదు దాటేది, గీకుబల్లి కంటే ముందు కదిలేది. అది నిజం. కానీ అసలు తప్పు ఆవిడ పెంపకంలోనే ఉందని నాకు అప్పుడు కనిపించింది. పెంచడానికి ఇచ్చే మార్కులకు హద్దుంది. అత్తయ్య వడికి ముప్ఫై ఆరు వేసి, మిగతా అయిదు గుణాలకూ తలా మూడు వేసింది. నాలుగైతేనే ఒకటి కనక, మూడు వేస్తే సున్నా. పదిహేను మార్కులు బూడిదలో పోసిన పన్నీరు. అవీ వడికే వేసుంటే గీకుబల్లికి తుర్రుమణి తోక కూడా దొరికేది కాదు.

"ఎందుకిలా పంచావు?" అని అరిచాను.

"వడికి అంత ఇచ్చి, మిగతావాటికి ఏమీ ఇవ్వకపోతే చిన్నబుచ్చుకోవూ? తలా కాస్త కొసరు వేశాను," అంది.

చిన్నాన్న ఊరుకునే మనిషి కాదు. సాయంత్రం రోడ్డు దాటి వచ్చి, కొట్టు ముందు బల్ల మీద తీరిగ్గా కూర్చున్నాడు. "చూశావా అక్కా. ఆఖరికి గేములో కూడా కొసరు చెల్లదు. లెక్కంటే లెక్కే."

"పందెం వేస్తావురా?" అంది అత్తయ్య.

నేను మెట్ల మీంచి వద్దు వద్దని చేతులూపుతూనే ఉన్నాను. ఎవరూ చూళ్ళేదు. ఆదివారం పోటీ. చిన్నాన్న ఓడితే ప్రతి గిరాకీకీ కొసరు ఇవ్వాలి. అత్తయ్య ఓడితే తన గుమ్మానికి 'ఇక్కడ కొసరు ఇవ్వబడదు' అని బోర్డు తగిలించాలి, అది ఉన్నంతకాలం ఆ మాట మీద నిలబడాలి. ఇద్దరూ మాట తప్పే రకం కాదు. మా వంశంలో మొండితనం పుట్టుకతోనే నిండుగా వస్తుంది, పెంచాల్సిన పని లేదు.

ఆ రోజు నుంచి అత్తయ్య మేకులు తూచి గుప్పెడు వేస్తూ ఆ గుప్పిటవంకే చూసుకునేది. కొసరు లేకపోతే ఆవిడ కొట్లో మిగిలేది ఇనుమే. నాకు చాలా బాధేసింది. బాధలో మనిషి మంచి పనులు చేస్తుంది కానీ సరిగ్గా చెయ్యదు. గేములో ముక్కలు కోసే నియమం తీసేశాను. ముక్క మిగిలితే పై అంకెకు పెంచి, దాని మీద ఇంకాస్త కలిపేలా రాశాను. ఒక్కళ్ళకే చేస్తే మోసమవుతుంది కనక అందరికీ పెట్టాను, ఇద్దరికీ చెప్పాను. "నీ ఇష్టం, నా బల్లికీ వస్తుంది కదా," అన్నాడు చిన్నాన్న. అత్తయ్య మాత్రం నా నెత్తిన చెయ్యి పెట్టి, "తాతయ్య పోలిక వచ్చిందే నీకు," అంది. రెండు రోజులు ఆ మాటతోనే కడుపు నిండింది.

ఆదివారం పొద్దున కొట్టు ముందు బల్ల చుట్టూ వీధి సగం చేరింది. తీర్పు చెప్పడానికి మా వీధి వడ్రంగిని కూర్చోబెట్టారు. రెండు ఫోన్లూ పక్కపక్కన పెట్టి పోటీ మొదలుపెట్టారు. తుర్రుమణి రంగంలోకి దిగింది.

దిగింది అనకూడదు. కప్పేసింది. నా గేములో ఓపిక అనే గుణం ఎంత ఉంటే జంతువు బొమ్మ అంత పెద్దదవుతుంది. తెరంతా ఒకటే కన్ను. ఆ కంటి మూలన గీకుబల్లి తోక చివర కొంచెం కనిపించింది, తర్వాత అదీ కనిపించలేదు. వడి ఆరువందల పన్నెండు అని చూపిస్తోంది. ఏం జరిగిందో ఎవరూ చూడకముందే పోటీ అయిపోయింది.

"కొసరమ్మ గెలిచింది," అన్నాడు వడ్రంగి. జనం చప్పట్లు కొట్టారు.

అత్తయ్య కొట్టలేదు. "ఆరువందలేమిటే?" అని నన్నడిగింది.

ఫోను తీసుకుని చూస్తే నా తప్పు తెలిసింది. గేము తెరిచిన ప్రతిసారీ అంకెలన్నీ మళ్ళీ లెక్క కడుతుంది. నేను కలిపిన కొసరు వెనక్కి పోకుండా లెక్కలోనే ఉండిపోతోంది, దాని మీద ఇంకో కొసరు పడుతోంది. చిన్నాన్న ఫోను చార్జింగు ఖర్చవుతుందని ఆదివారం దాకా మళ్ళీ గేము తెరవనే లేదు. అత్తయ్య తుర్రుమణి ముఖం చూడకుండా గుక్కెడు నీళ్ళు కూడా తాగలేదు.

ఇదంతా చెప్పాను.

"కొసరు తూకం అయ్యాక వేస్తారే," అంది అత్తయ్య. "దాన్ని మళ్ళీ తక్కెట్లో పెట్టకూడదు. పెడితే అది కొసరు కాదు, దొంగ తూకం. ఈ గెలుపు నాకొద్దు. నీ పాత లెక్క పెట్టు."

"అత్తయ్యా, పాత లెక్కలో నువ్వు ఓడిపోతావు."

"తెలుసు. పెట్టు."

పెట్టాను. డెబ్భై అయిదు, డెబ్భై నాలుగు. గీకుబల్లి ముందు కదిలింది. ఒక్క గీకు.

బోర్డు రాసే పని వడ్రంగే చేశాడు, చిన్న ప్లైవుడ్ ముక్క మీద. అత్తయ్య సుత్తి పట్టుకుని బయటికొచ్చి, "ఈ పాపానికి నా మేకులు వాడను," అని రోడ్డు దాటి తమ్ముడి కొట్లోకి వెళ్ళింది. వెనకాలే నేను. "ఇరవై గ్రాముల మేకులివ్వు. ఈ సైజువి," అని ఒకటి చూపించింది.

చిన్నాన్న నాలుగు వేశాడు. పద్దెనిమిది. అయిదోది వేశాడు. ఇరవై మూడు. ఇంకోరోజైతే డబ్బాలన్నీ గాలించి చిన్న మేకు వెతికేవాడే. కానీ బయట జనం ఎదురుచూస్తున్నారు, అక్క గుమ్మానికి బోర్డు పడే క్షణం కోసం ఆయన ప్రాణం లాగుతోంది. "సర్లే, ఉండనీ, పద పద," అన్నాడు.

అత్తయ్య ఇరవై గ్రాములకే డబ్బులిచ్చి, అయిదూ గుప్పిట పట్టింది. వచ్చి బోర్డు నాలుగు మూలలా నాలుగు మేకులు ఏదో కొట్టాననిపించింది. అయిదోదాన్ని మాత్రం నట్టనడుమ పెట్టి, తల ప్లైవుడ్‌లో మునిగేదాకా దిగ్గొట్టింది. అప్పుడు తమ్ముడివైపు తిరిగింది. "ఇరవై గ్రాములే అడిగాను. ఈ అయిదో మేకేమిట్రా?"

చిన్నాన్న మొహంలో రంగు మారింది. "అది పొరపాటున వచ్చింది. ఇచ్చెయ్."

"అమ్మిన సరుకు వాపసు లేదని నీ కొట్లోనే రాసుంది కదరా."

"దాన్ని నేను అమ్మలేదు."

"అమ్మలేదూ? మరి ఏమిటది?"

వీధి వీధంతా ఆయన నోటివంక చూస్తోంది. చిన్నాన్న చొక్కా గుండీ సర్దుకున్నాడు, వడ్రంగివంక చూశాడు, నావంక చూశాడు. "కొసరు," అన్నాడు. పుట్టి బుద్ధెరిగాక ఆయన నోట ఆ మాట ఇచ్చేవాడిగా రావడం అదే మొదలు.

నవ్వులకు కొట్టు రేకులు కదిలాయి. చిన్నాన్నకు ఉక్రోషం వచ్చింది. తన మేకు తనకు కావాల్సిందేనన్నాడు. తల లోపలికి దిగిపోయింది కనక సుత్తికి చిక్కదు. వెనకనుంచి ఉలి పెట్టి ఎత్తితే నాలుగు మూలలూ ఇట్టే ఊడొచ్చాయి, నడిమి మేకుతో సహా బోర్డంతా చేతికొచ్చింది. ఎంత కుదిపినా మేకు బోర్డును వదల్లేదు. బోర్డును చంకలో పెట్టుకుని రోడ్డు దాటి వెళ్ళిపోయాడు.

"నేను తగిలించాను, అందరూ చూశారు," అంది అత్తయ్య. "ఉన్నంతకాలం నిలబడ్డాను. పీక్కెళ్ళింది వాడు." వడ్రంగి ఆలోచించి, పందెం తీరిందని తీర్పు చెప్పాడు.

ఆ బోర్డు ఇప్పుడు చిన్నాన్న కొట్లో కాటా పక్కన గోడకు ఆనించి ఉంది, మేకు వచ్చే దారి ఆయనకింకా దొరకలేదు. మర్నాడు ఎవరో కొత్త గిరాకీ దాన్ని చదివి, తల గోక్కుని, రోడ్డు దాటి మా కొట్టుకొచ్చాడు. అత్తయ్య మేకులు తూచి, పైన గుప్పెడు వేసింది. ఆ గుప్పిట మామూలుకన్నా పెద్దది.

అయిదు మేకులైతే ఇరవై దాటుతాయని ఇన్నేళ్ళు మేకులమ్మిన మనిషికి తెలియదా అని నాకు అప్పుడు అనుమానం వచ్చింది. అడిగేశాను.

"తెలుసు," అంది అత్తయ్య, డబ్బా మూత పెడుతూ. "వాడు కాటా మీంచి అయిదోది తీసేస్తాడేమోననే భయపడ్డాను. తియ్యలేదు చూడు."

ఆ మాట అంటూ రోడ్డు అవతలికి చూసింది. చిన్నాన్న బోర్డును ఒళ్ళో పెట్టుకుని మేకును అటూ ఇటూ ఆడిస్తున్నాడు.