భుజం మీద చెయ్యి

మాది హిందూపురంలో కాపురం. ఉద్యోగం పెనుకొండ హైస్కూల్లో, తెలుగు టీచరుగా. చాలా ఏళ్లు పొద్దుటి రైల్లో నాకు ఎదురు సీటులో మా బడి లెక్కల సారు కూర్చునేవారు. ఆయనదీ హిందూపురమే. కిటికీ పక్కన నేను, ఎదురుగా ఆయన, మధ్యలో ఆయన తెచ్చిన ఉడకబెట్టిన చెనక్కాయలు. మాట్లాడుకునేది పెద్దగా ఏమీ ఉండేది కాదు. బదిలీలు, మోకాళ్ల నొప్పులు, యాప్‌లో పడని హాజరు, అంతే. కానీ ఒక మనిషి ఎదురుగా ఉంటే దారి తెలియకుండా గడిచిపోయేది.

ఆయన మంచి టీచరు. ఈ మాట మొదటే చెప్పాలి, ఎందుకంటే తర్వాత చాలామంది నన్ను అడిగింది అదే. బడి వదిలాక కూడా పదో తరగతి వాళ్లను కూర్చోబెట్టుకుని లెక్కలు చేయించేవారు. కొట్టడం, తిట్టడం ఎరగరు. ఆయనకున్నదల్లా ఒకటే అలవాటు. పిల్లలు లెక్క చేస్తుంటే వెనకనుంచి వచ్చి, భుజం మీద చెయ్యి వేసి, వంగి పుస్తకంలోకి చూసేవారు. తప్పుంటే ఆ చెయ్యి అలాగే ఉంచి రెండో చేత్తో దిద్దేవారు. మగపిల్లలైనా ఆడపిల్లలైనా ఒకటే. మేమంతా రోజూ చూసేవాళ్లం. చూసినట్టు కూడా అనిపించేది కాదు.

ఒక ఏడు బడిలో పిల్లల రక్షణ కమిటీ వెయ్యమని ఆదేశాలు వచ్చాయి. ఆడవాళ్లలో సీనియర్‌ని కాబట్టి నన్ను కన్వీనర్‌ని చేశారు. ధర్మవరంలో ఒకరోజు శిక్షణకు లెక్కల సారు, నేను కలిసే వెళ్లాం. పిల్లల ఒంటి మీద వాళ్లకే హక్కు, వాళ్లకు ఇష్టం లేనప్పుడు మన ఉద్దేశం ఎంత మంచిదైనా చెయ్యి తీసెయ్యాలి, అని అక్కడ చెప్పారు. నేను రాసుకున్నాను. తిరుగు రైల్లో సారు నవ్వి అన్నారు.

"ఇంగ పిల్లోని వీపు తట్టల్లన్నా అర్జీ పెట్టుకోవల్లేమో మేడం."

నేనూ నవ్వాను. ఆరోజు ఇద్దరం అలిసిపోయి ఉన్నాం.

దసరా సెలవుల తర్వాత ఒక మధ్యాహ్నం, అన్నాలు తిని పిల్లలు చేతులు కడుక్కునే కుళాయి దగ్గర తొమ్మిదో తరగతి అమ్మాయి ఒకతె నా కోసం నిలబడి ఉంది. వాళ్ల నాయనకు బస్టాండు దగ్గర టింకరింగ్ షాపు. లెక్కల్లో ఆ తరగతికంతా ముందుండే పిల్ల. ఇటీవల మార్కులు పడిపోయాయని స్టాఫ్ రూమ్‌లో ఆ సారే బాధపడ్డారు.

"మేడం, ఒక మాట చెప్తా. ఎవురికీ చెప్పగూడదు" అంది.

అలా మాటివ్వలేనని, అవసరమైనవాళ్లకు మాత్రమే చెప్తానని అన్నాను. కుళాయి కట్టేసి సరేనంది.

"లెక్కల సారు భుజం మింద చెయ్యి ఏస్తాడు. నాకు వద్దనిపిస్తాది."

"చెయ్యి వెయ్యడం కాక ఇంకేమన్నా చేసినారా?"

"లే మేడం. సారు మంచోడే. చెయ్యి ఏస్తే నాకు లెక్క మర్చిపోతాది. ఎప్పుడు తీస్తాడా అని అదే చూస్తాంటా."

"ఆయనకు చెప్పినావా?"

"ఎట్ల చెప్తా? పక్కకు జరిగినా. తనకు చోటిచ్చినా అనుకోని ఆయప్పా ఇంగా దగ్గరికి జరిగినాడు." తలొంచుకుని చెప్పింది. "అందుకే గోడ పక్కన కూచుంటాండా. ఆడికైతే ఎనక నుంచి రాలేడు. ఏమన్నా డౌటుంటే అడగను. అడిగితే వస్తాడు కదా."

మార్కులు ఎందుకు పడిపోయాయో అప్పుడు అర్థమైంది. దాని వెనక పెద్ద కథేమీ లేదు. ఒక చెయ్యి, దాన్ని వద్దనలేని ఒక పిల్ల.

హెడ్మాస్టరుకు చెప్పాను. ఆయన కళ్లద్దాలు తీసి తుడుచుకుని, "కాగితం మీదికి రానీకండి మేడం. మీరిద్దరూ రోజూ కలిసి పోతాంటారు కదా, మెల్లగా మీరే చెప్పండి" అన్నారు. రాసి పెట్టాల్సింది రాసే పెడతానని, ముందు మాట్లాడి చూస్తానని చెప్పి వచ్చాను.

ఆ సాయంత్రం పెనుకొండ స్టేషన్లో రైలు ఆలస్యం. ప్లాట్‌ఫాం చివర సిమెంటు బెంచీ మీద కూర్చుని ఉన్నాం. ఎంత మెల్లగా చెప్పినా ఆ మాట మెల్లగా ఉండదని నాకు తెలుసు. చెప్పేశాను.

సారు ముఖం మారిపోయింది, సంచి ఒళ్లోకి లాక్కున్నారు.

"ఎవురు?" అన్నారు.

"పేరు చెప్పను సార్."

"నా కూతురంత పిల్లోళ్లు మేడం వాళ్లు."

"మీ మనసులో ఏమీ లేదని నాకు తెలుసు. ఆ పిల్లకూ తెలుసు. ఆ చెయ్యి వద్దంటాంది, అంతే."

"మీరు గూడా అట్లే అనుకుంటాండారా?"

"నేను అనుకునేది ఏమీ లేదు సార్. వద్దంటే తీసెయ్యల్ల కదా."

ఆయన సంచి తీసుకుని లేచి నడుచుకుంటూ ప్లాట్‌ఫాం ఆ చివరికి వెళ్లిపోయారు. రైలొచ్చాక వేరే పెట్టె ఎక్కారు. ఖాళీ సీటుకు ఎదురుగా కూర్చుని హిందూపురం దాకా వచ్చాను. మరో ఊళ్లో మరో బడిలో ఎవరో ఇలాగే కూర్చుని ఉంటారనుకుంటే కూడా ఏమీ తేలిక కాలేదు.

మర్నాడు ఆయన తొమ్మిదో తరగతికి వెళ్లి, "నా మింద ఎవురో కంప్లయింటు ఇచ్చినారు. ఈ పొద్దుట్నుంచి నేను ఎవురి దగ్గరికీ రాను. పుస్తకాలు టేబుల్ మింద పెట్టి పోండి" అన్నారట. కోపంతో కాదు, దెబ్బతిన్న గొంతుతో అన్నారని పిల్లలు చెప్పారు. దానివల్ల జరిగింది మాత్రం కోపం వల్ల జరిగేదే. ఎవరు చెప్పారు, ఎవరు చెప్పారు అని తరగతంతా వెతుకులాట మొదలైంది. గోడ పక్కకు మారిన పిల్ల ఎవరో గుర్తుపట్టడం ఎంతసేపు? మంచి సారును ఏడిపించావని ఆడపిల్లలే మాట్లాడటం మానేశారు. మగపిల్లలు ఆమె దారిలో వస్తే చేతులు వెనక్కి పెట్టుకుని నిలబడేవాళ్లు, తాకితే కేసవుతుందని. గురువారానికల్లా ఆ అమ్మాయి బడికి రావడం ఆపేసింది.

శనివారం వాళ్లమ్మ వచ్చింది. పుట్టిల్లు ధర్మవరం, పెళ్లయి పెనుకొండ వచ్చిన మనిషి. స్టాఫ్ రూమ్ గుమ్మం దగ్గర ముఖం మీది ముసుగు తీసి, లోపలికి రమ్మన్నా రాకుండా అక్కడే నిలబడింది. పిల్ల ఇంట్లో అన్నీ చెప్పేసిందట.

"సారు తప్పు చేసినాడా మేడం?"

చెడ్డ ఉద్దేశంతో ఏమీ చెయ్యలేదన్నాను.

"మా పాప అబద్ధం చెప్పిందా?"

"లేదమ్మా. ఉన్నదే చెప్పింది."

"మరి నా బిడ్డ ఏంటికి ఇంట్లో కూచోనుండాది?"

సోమవారానికి ఏదో ఒకటి చేస్తానన్నాను. ఆమె నమ్మినట్టు లేదు. తలూపి వెళ్లిపోయింది.

ఆదివారం సారు ఇంటికి వెళ్లాను. అంత దగ్గరగా ఉంటూ అంతకు ముందు పండక్కో పేరంటానికో తప్ప వెళ్లింది లేదు. ఆయన వరండాలో పేపరు చూస్తున్నారు. కూర్చోమని కూడా అనలేదు. ఆయన భార్యే కుర్చీ వేసి టీ తెచ్చింది. ఆ పిల్ల బడికి రావడం లేదని, వాళ్లమ్మ అడిగిన మాటా చెప్పాను.

"నేనేం జెయ్యల్ల మేడం? దగ్గరికి పోతే తప్పు, దూరంగా ఉంటే తప్పు. ఇన్నేండ్లూ లేని తప్పు ఇప్పుడు యాడ నుంచి వచ్చె?" అన్నారు.

నేను మాట్లాడేలోపల ఆయన భార్య అందుకుంది. తలుపు దగ్గర నిలబడి, టీ గ్లాసులు తీసుకుపోవడానికి వచ్చినట్టుగా.

"నాకూ అట్లే ఉంటాది" అంది.

ఆయన తలెత్తారు.

"ఎనక నుంచి వచ్చి భుజం మింద చెయ్యి ఏస్తావు. పొయ్యి కాడ ఉన్నా అంతే. ఉలిక్కిపడతా నేను. పెండ్లయినప్పటి నుంచీ చెప్తాండా."

"నువ్వెప్పుడు చెప్పినావు?"

"చెప్పినా. చెప్పినప్పుడల్లా నవ్వినావు."

ఆమె గొంతులో ఫిర్యాదేమీ లేదు. ఉప్పు తక్కువైందని చెప్పినట్టు చెప్పి, గ్లాసులు తీసుకుని లోపలికి వెళ్లింది. సారు పేపరు మడిచారు, మళ్లీ విప్పారు. ఆయన వైపు చూడటం బాగుండదనిపించి వీధిలోకి చూస్తూ కూర్చున్నాను. కాసేపటికి, "మేడం, మీరు పోయిరాండి" అన్నారు. ఆ మాటలో మునుపటి బిగువు లేదు.

సోమవారం పొద్దున ప్రార్థన అయ్యాక తొమ్మిదో తరగతి గదికి ఆయన వెంట నన్నూ రమ్మన్నారు. బల్ల ముందు నిలబడి, అలవాటు లేని పాఠం చెప్పినట్టు, ఆగి ఆగి మాట్లాడారు.

"పోయిన వారం నేను ఒక మాటంటి. అది అనకూడని మాట. ఎవురైనా నాకిది ఇష్టం లేదు అని చెప్తే అది కంప్లయింటు కాదు. చెప్పినోళ్లు మంచి పని చేసినారు. ఇంగ దీని గురించి ఎవురైనా ఎవురినైనా ఎగతాళి చేస్తే నేను ఊరుకోను. మీ బెంచీ కాడికి రావల్లంటే అడిగి వస్తా."

అంతే చెప్పి సుద్దముక్క తీసుకుని బోర్డు వైపు తిరిగారు. ఆ మధ్యాహ్నం నేను టింకరింగ్ షాపు వీధికి వెళ్లి వాళ్లమ్మతో మాట్లాడాను. ఆ పిల్ల బుధవారం వచ్చింది. కొన్నాళ్లు గోడ పక్కనే కూర్చుంది. సారు బెంచీల మధ్యకు వచ్చేటప్పుడు, "రావచ్చునా అప్పా?" అని పిల్లల్ని అడిగేవారు. పిల్లలు మొదట్లో కిసుక్కున నవ్వేవాళ్లు. తర్వాత వాళ్లకదే మామూలైంది. సంక్రాంతి సెలవులు దాటాక ఒకరోజు వరండాలో పోతూ చూశాను. ఆ అమ్మాయి పుస్తకం పట్టుకుని టేబుల్ దగ్గరికి తనే వెళ్లి నిలబడింది. ఆయన రెండు చేతులూ బల్ల మీద పెట్టుకుని లెక్క చెప్తున్నారు. ఆమెతో మాట్లాడటం మానేసిన స్నేహితురాళ్లలో ఇద్దరు మళ్లీ కలిశారు. మిగతావాళ్లు కలవలేదు.

మా ఇద్దరి సంగతి మాత్రం అంత బాగా తేలలేదు. స్టాఫ్ రూమ్‌లో నమస్కారం పెట్టేవారు, పని ఉంటే మాట్లాడేవారు. రైల్లో మాత్రం మళ్లీ ఎదురుగా కూర్చోలేదు. ఆయనకు నా మీద కోపం ఉందనుకోను. ఆరోజు ప్లాట్‌ఫాం మీద ఆయన ముఖం ఎలా మారిందో చూసినదాన్ని నేనే కదా. కొందరు టీచర్లు నా ముందు మాట జాగ్రత్తగా ఆడటం మొదలుపెట్టారు. నేను గదిలోకి వస్తే నవ్వులు ఆగిపోయేవి. తర్వాతి బదిలీల్లో సారు ధర్మవరం వెళ్లిపోయారు. ఆ అమ్మాయి ఇప్పుడు పాలిటెక్నిక్ చదువుతోందని వాళ్లమ్మ సంతలో కనబడి చెప్పింది.

ప్రతి జూన్‌లోనూ కొత్తగా వచ్చిన టీచర్లకు శిక్షణలో విన్న ఆ మాటలు మళ్లీ మొదటినుంచి చెప్పాలి. ఎప్పుడూ ఎవరో ఒకరు, "మనం తల్లిదండ్రుల లాంటోళ్లం కదా మేడం" అంటారు. ఆ మాట అన్నవాళ్లను చూస్తే నాకు కోపం రాదు, నడుం నొప్పి వస్తుంది. ఎక్కడ మొదలుపెట్టి ఎక్కడ ఆపాలో తెలుసు. మధ్యలో ఎవరెవరి ముఖాలు ముడుచుకుంటాయో కూడా తెలుసు. ఈ ఏడు కన్వీనర్ పని ఇంకెవరికైనా ఇవ్వమని హెడ్మాస్టర్ని అడిగాను. ఇప్పుడున్నాయన కొత్తవాడు, కుర్రవాడు.

"ఎవురున్నారు మేడం, మీరే చెప్పండి" అన్నాడు.

స్టాఫ్ రూమ్ వైపు చూశాను. తలలన్నీ దిద్దుతున్న పేపర్ల మీద ఉన్నాయి. సరే, నేనే ఉంటానని చెప్పి, ఐదో పీరియడ్ ఉంటే ఎనిమిదో తరగతికి వెళ్లిపోయాను.