కార్తేజులో కప్పిన బట్ట

ఏసుకుమారి మాట్లాడుతుంటే ఫ్రాంక్‌ఫర్ట్‌లో దిగాల్సిన విమానం ఇంకో చుట్టు తిరిగి, ఆమె మాట అయ్యాకే దిగుతుందని అక్కడి తెలుగువాళ్ళు చెప్పుకుంటారు. కోతలనేవాళ్ళు ఎయిర్‌పోర్టు కార్గోలో ఆమెతో ఒక్క షిఫ్టు చేసి చూడాలి. ఈ నరసాపురం పిల్ల కనుబొమ్మ ఎగరేస్తే ఆరడుగుల జర్మన్లు నలభైమంది పెట్టెలు దించకముందే సారీ చెబుతారు.

అలాంటి మనిషి ఆదివారం తెలుగు క్రైస్తవ సహవాసంలో మాత్రం నోరు కట్టుకుని కూర్చునేది. పాప కోసం. ఎనిమిది నెలల పాపను సంఘం ముందు దేవుడికి ప్రతిష్ఠ చేయించాలని ఆమె ఆశ. సంఘపెద్ద దయాసాగర్ చేతుల్లోకి తీసుకుని ప్రార్థిస్తేనే అది జరిగినట్టు.

"పాలు తాగే పిల్లను కీటాలో, ఆ పిల్లల్ని చూసే సెంటర్లో పడేసి పనికెళ్ళే తల్లికి ప్రతిష్ఠేంటమ్మా? ముందు ఉద్యోగం మానెయ్," అన్నాడాయన.

"ఇంటందరి వీసా నా ఉద్యోగం మీదే ఉందండీ."

"తల్లికి బిడ్డే ఉద్యోగం," అందుకుంది ఆయన భార్య సూజీ. "మా హ్యారీ మూడేళ్ళదాకా నా ఒళ్ళోంచి దిగలేదు."

"ఇప్పుడైనా దిగాడా అక్కా? కాట్‌బస్ యూనివర్సిటీ నుంచి మాసిన బట్టలు ఇంకా మీకే పంపిస్తున్నాడుగా."

ఆ మాటకి దయాసాగర్ పగబట్టాడు. స్త్రీల ఆదివారానికి కార్డు అచ్చేయించాడు: 'బిడ్డను ఒడి దించని హతసాక్షి పెర్పెతువా. సాక్ష్యం: ఏసుకుమారి.' ఆ తల్లి గురించి అందరి ముందూ ఏసుకుమారే చెప్పి, తనే తలదించుకోవాలని ఎత్తు. "బాగా చెప్పు. ప్రతిష్ఠ సంగతి ఆ తర్వాత," అన్నాడు.

ఏసుకుమారి పనికెళ్తూ ఎస్-బాన్ రైల్లో ఆ కథ చదివింది. చదివి నవ్విన నవ్వుకి ఎదురు సీటు కుక్క యజమాని కాళ్ళ కింద దూరింది. దయాసాగర్ కార్డు అచ్చేయించాడే కానీ కథ చదవలేదు!

ఆదివారం తెల్లచీర కట్టి మైకు పట్టుకుంది.

"వందనాలండీ. కార్డు తప్పు. పద్దెనిమిది వందల ఏళ్ళ కింద రోమన్లు కార్తేజు ఊళ్ళో చెరవేసిన పెర్పెతువా బిడ్డను ఒడి దించింది. చెరలో పాలిచ్చింది, తన తల్లికి అప్పగించింది, మళ్ళీ తెప్పించుకుంది. మరణశిక్ష పడ్డాక ఆమె తండ్రి ఇక బిడ్డను పంపలేదు. అయినా విశ్వాసం వదల్లేదు. ఆమెను చెడ్డతల్లి అంటారా అయ్యగారూ?"

"చాల్లే, కూర్చో!" దయాసాగర్ లేచాడు.

"సగమే అయిందండీ. ఆమెతోపాటు ఫెలీసితా అనే బానిస. ఎనిమిదో నెలలో చెరలోనే ఆడపిల్లను కంది. ఆ పిల్లను పెంచింది ఎవరనుకున్నారు? సంఘంలోని ఒక సహోదరి. ఆ సంఘం బిడ్డను తీసుకుని పెంచింది. మీరు ఎత్తుకోవడానికే షరతులు పెడుతున్నారు."

అప్పుడే స్ట్రోలర్‌లో పాప ఆకలికి ఏడ్చింది. ఆ ఏడుపుకి ఏసుకుమారికి పాలు చేపాయి. జాకెట్టు తడిసి, తెల్లచీర మీద మరక పాకింది.

సూజీ శాలువాతో ఉరికొచ్చింది. "సిగ్గులేదే నీకు? కప్పుకో!" అంటూ మీద కప్పేసింది.

ఏసుకుమారి మైకు వదల్లేదు. "కార్తేజులోనూ ఇదే జరిగిందక్కా. శిక్ష రోజు మృగాల బరిలో ఫెలీసితా రొమ్ముల నుంచి పాలు కారుతుంటే జనం చూడలేకపోయారు. బట్ట కప్పించారు. కప్పించాకే చంపించారు."



"ప్రతిష్ఠ లేదు!" అరిచాడు దయాసాగర్. "ఈ సంఘంలో నీకు చోటే లేదు, పో!"

ఏసుకుమారి మైకు పెట్టేసి, పాపను తీసి రెండు చేతులా పైకెత్తింది. "ప్రభువా, ఇది నీ పిల్ల. రేపు ఏడింటికి కీటాకి వెళ్తుంది. ఆమేన్."

ఒక్కరూ ఆమేన్ అనలేదు. స్ట్రోలర్ తోసుకుంటూ దయాసాగర్ దగ్గర ఆగింది. శాలువా తీసి, ఆయన భుజాల చుట్టూ శ్రద్ధగా సర్ది, అంది:

"మీరే కప్పుకోండి అయ్యగారూ. చూడలేకపోతున్నాం."